దెబ్బ పడితేనే హింస అని నమ్ముతామా? టీనేజ్ ప్రేమల మీద వచ్చిన నవలల గురించి ఒక చర్చ

నల్లరేగడి (చర్చ ప్రారంభం)

మా ఊరి జూనియర్ కాలేజీ గ్రంథాలయానికి కొనవలసిన ఇంగ్లీషు నవలల జాబితా తయారుచేసే పని ఈ ఏడాది నాకు అప్పగించారు. ప్రేమ పేరుతో ఒకరు మరొకరిని గుప్పిట్లో పెట్టుకోవడం, అందులోంచి ఆ రెండోవారు బయటపడడం కథావస్తువుగా పిల్లల కోసం రాసిన నవలలను వరసగా చదువుతుంటే నాకు ఒక సందేహం కలిగింది. ఇక్కడి పెద్దల అభిప్రాయం తెలుసుకుందామని దాన్ని చర్చకు పెడుతున్నాను.

అమెరికాలో ఈ కోవలో పేరున్న మూడు నవలలను తీసుకుంటాను. 2000లో వచ్చిన సారా డెసెన్ ‘డ్రీమ్‌ల్యాండ్’లో రోజర్సన్ అనే కుర్రవాడు కేట్లిన్‌ను కొడుతుంటాడు, ఆమె ఆ కమిలిన మచ్చలను పొడుగు చేతుల చొక్కాల కింద దాచుకుంటూ, నలుగురి కంటా పడేదాకా ఎవరికీ చెప్పదు. 2001లో వచ్చిన అలెక్స్ ఫ్లిన్ ‘బ్రీదింగ్ అండర్‌వాటర్’లో కథ చెప్పేది కొట్టిన కుర్రవాడే. (రెండు నవలల్లోనూ అమ్మాయి పేరు కేట్లినే, ఎవరి గురించి చెబుతున్నానో చదివేవారు తికమకపడకూడదని ముందే అంటున్నాను.) 2011 నాటి జెన్నిఫర్ బ్రౌన్ ‘బిటర్ ఎండ్’లో కోల్ అనే కుర్రవాడు మొదట అలెక్స్ అనే అమ్మాయి రాసే కవితలను మెచ్చుకుని దగ్గరవుతాడు, తరువాత ఆమెకు ఊహ తెలిసినప్పటి నుంచీ ఉన్న ఇద్దరు స్నేహితులను దూరం చేస్తాడు, ఆ పైన చేయి చేసుకుంటాడు.

ఈ మూడింటిలోనూ చేయి లేచేలోపల ఎంతో జరుగుతుంది. ఫ్లిన్ నవలలో నిక్ తన కేట్లిన్‌ను లావుగా ఉన్నావని పదే పదే చులకన చేస్తాడు, ఎక్కడున్నావో చెప్పమని వెంటపడతాడు, అందరి ముందూ పాడవద్దని ఆంక్ష పెడతాడు. నా దృష్టిలో అసలు నవల అదే. కానీ దెబ్బ పడగానే అంతవరకు చదివినదంతా ఆ దెబ్బకు పీఠికగా మారిపోతుంది. అటువంటి ఆంక్షల మధ్యే బతుకుతున్న పదహారేళ్ల పాఠకురాలు పుస్తకం మూసి, ‘నన్నెప్పుడూ కొట్టలేదు కదా, నాది అలాంటిది కాదు’ అని ఊపిరి పీల్చుకునే ప్రమాదం ఉంది. అందువల్ల మానసిక హింస గురించి రాసే నవల ఒక్క దెబ్బ కూడా లేకుండా చివరిదాకా నిలబడాలని నా వాదన. మీరేమంటారు?

కొల్లేటికొంగ

నల్లరేగడి గారూ, మీ ఆందోళన అర్థమయింది గాని మీరు సూచించిన మందు రోగాన్ని పెంచుతుందని నా భయం. దెబ్బ లేకుండా రాస్తే పిల్లలు ఎలా చదువుతారో తెలుసుకోవడానికి కొత్తగా ప్రయోగాలు చేయనక్కరలేదు. స్టెఫనీ మేయర్ రాసిన ‘ట్విలైట్’ 2005లో వచ్చింది. అందులో నాయకుడు ఎడ్వర్డ్, నాయిక బెల్లాకు తెలియకుండా రాత్రిళ్లు ఆమె గదిలోకి వచ్చి, ఆమె నిద్రపోతుంటే చూస్తూ ఉంటాడు. 2007లో వచ్చిన మూడవ భాగం ‘ఎక్లిప్స్’లో, ఆమె జేకబ్ అనే స్నేహితుడి దగ్గరకు వెళ్లకుండా ఆమె ట్రక్కు ఇంజన్‌లోని భాగాన్నే తీసి దాచేస్తాడు. కొట్టడం ఎక్కడా లేదు. ప్రపంచమంతటా కోట్లాది ప్రతులు అమ్ముడుపోయిన ఆ పుస్తకాలను చదివిన అమ్మాయిలలో ఎందరో దానిని ఆదర్శప్రేమగానే చదివారు. హింసగా చదివినవారు ప్రధానంగా పెద్దవారైన విమర్శకులు.

మన సంగతి అంతకంటే మెరుగేమీ కాదు. వారపత్రికల సీరియళ్ల రోజుల నుంచీ అనుమానపడే నాయకుడు, గదమాయించే నాయకుడు, ‘నా మాట వినకపోతే చూడు’ అనే నాయకుడు చివరి సంచికలో ఎంత ప్రేమించాడో బయటపెట్టి మార్కులన్నీ కొట్టేసేవాడు. ఇప్పుడు ఫోన్లలో ధారావాహికలుగా వచ్చే కథల్లోనూ ఆ నాయకుడే ఉద్యోగం మార్చుకుని తిరుగుతున్నాడు. ఈ వాతావరణంలో పెరిగిన పాఠకురాలికి అదుపును ప్రేమ నుంచి విడదీసి చూపే గీత ఒకటి స్పష్టంగా కావాలి. ఆ గీత దెబ్బ. అది మొరటుగా ఉండవచ్చు, కానీ పొరబడే అవకాశం ఇవ్వదు.

ట్రెంట్ నది

నేను ఇంగ్లండులో ఉంటాను. ఇదే చిక్కు ఇక్కడి చట్టానికి కూడా ఎదురైంది కనుక ఆ సంగతి చెబుతాను. 2015 నాటి తీవ్ర నేరాల చట్టంలోని 76వ సెక్షన్ ప్రకారం, ఒకరితో ప్రేమబంధంలోనో కుటుంబంలోనో ఉంటూ వారిని పదే పదే అదుపు చేయడం, బెదిరించి లొంగదీసుకోవడం నేరం. ఒక్క దెబ్బ కొట్టకపోయినా అయిదేళ్ల దాకా శిక్ష పడవచ్చు. అయితే నేరం రుజువు కావాలంటే ఆ ప్రవర్తన ప్రభావం తీవ్రంగా ఉండాలి. తన మీద హింసకు దిగుతాడని బాధితురాలు కనీసం రెండు సందర్భాల్లో భయపడి ఉండాలి, లేదా ఆమె కలత చెంది, ఆ కలత ఆమె దైనందిన జీవితాన్ని గణనీయంగా దెబ్బతీసి ఉండాలి.

ఈ రెండో షరతును నవలాకారులు గమనించాలని నా మనవి. అతను ఏం చేశాడనే దానికంటే ఆమె రోజు ఎలా కుంచించుకుపోయిందో చూడమంటోంది చట్టం. సంగీతం క్లాసు మానేసింది, బస్సు మార్చుకుంది, జడ వేసుకునే తీరు మార్చుకుంది, అమ్మమ్మగారి ఊరు వెళ్లడం మానేసింది; వీటిలో ఏ ఒక్కటీ నేరం కాదు, అన్నీ కలిపి చూస్తే తప్ప జరిగినది కనబడదు. అలా కలిపి చూపడానికి చిన్నకథలో చోటు చాలదు, నవలలోనే చాలుతుంది. కొల్లేటికొంగ గారు అడిగిన గీతను ఒక సంఘటనగా గీయనక్కరలేదు, మొదటి అధ్యాయంలోని సోమవారాన్నీ ఇరవయ్యో అధ్యాయంలోని సోమవారాన్నీ పక్కపక్కన పెడితే చాలు.

కృష్ణ ఒడ్డు

కొంతకాలం ఒక ఇంజనీరింగ్ కాలేజీ అమ్మాయిల హాస్టల్లో వార్డెన్‌గా పనిచేశాను. చర్చ అంతా అమెరికా, ఇంగ్లండుల చుట్టూ తిరుగుతున్నందువల్ల ఇక్కడి సంగతి కొంత చెప్పాలనిపించింది.

మొదటి సంవత్సరం అమ్మాయి ఒకతె భోజనాల వరుసలో నిలబడి, ఫోన్‌ను ఛాతీ ఎత్తున పట్టుకుని మెల్లగా చుట్టూ తిప్పేది. పక్కన ఎవరెవరు ఉన్నారో అవతలివాడికి కనబడాలి. సాంబారు వడ్డించే మనిషి ఆ తెరలో పడిన రోజున ‘వాడెవడు’ అన్న ప్రశ్నకు ఆమె నవ్వుతూనే సంజాయిషీ చెప్పుకుంది, కంచం మాత్రం సగంలోనే వదిలేసి పైకి వెళ్లిపోయింది. ఆ తరువాత వడ్డన ముగిసి హాలు ఖాళీ అయ్యాకే భోజనానికి దిగడం మొదలుపెట్టింది. తోటిపిల్లలు దానిని ‘పొసెసివ్’ అని ముచ్చటగా చెప్పుకునేవారు. అక్కడ దెబ్బకు ఆస్కారమే లేదు, ఎందుకంటే అతను ఉన్నది వేరే జిల్లాలో. దెబ్బ లేనిదే కథ నడవదని మనం తీర్మానిస్తే ఫోన్ మీద నడిచే ఈ బంధాలన్నీ నవలకు బయటే ఉండిపోతాయి.

మరో విషయం. పైన చెప్పిన అమెరికన్ నవలల్లో సంగతి పెద్దలకు తెలియడమే విముక్తికి దారి. మన ఇళ్లలో చాలాచోట్ల అబ్బాయి చేతిలో ఉన్న ఆయుధమే అది: ‘మీ నాన్నగారికి చెప్పేస్తాను, మన ఫొటోలు పంపిస్తాను’ అంటాడు. ఇంట్లో తెలిస్తే ముందు ఫోన్ లాక్కుంటారు, తరువాత చదువు మాన్పిస్తారు, ఆ పైన సంబంధాలు చూస్తారు. ఆమె భయం అతని కంటే తండ్రి మీద ఎక్కువగా ఉంటుంది, ఆ సంగతి అతనికి బాగా తెలుసు. చట్టం వైపు చూసినా దారి ఇరుకుగానే ఉంది. 2005 నాటి గృహహింస చట్టం మాటలతో, మానసికంగా పెట్టే బాధను కూడా హింసగానే గుర్తించింది, కానీ అది ఒకే ఇంట్లో కలిసి ఉంటున్న, లేదా ఒకప్పుడు ఉన్నవారికే వర్తిస్తుంది. కాలేజీ ప్రేమలు దాని పరిధిలోకి రావు. అమ్మాయికి పద్దెనిమిదేళ్లు నిండకపోతే, లైంగిక నేరాల నుంచి పిల్లలను కాపాడే పోక్సో చట్టం ఉంది గాని, ఆ చట్టం కిందికి వచ్చే నేరం జరిగిందని తెలిసినవారు తప్పనిసరిగా ఫిర్యాదు చేయాలి. విషయం గుట్టుగా ఉంచమని నమ్మి చెప్పుకున్న పిల్లకు ఆ హామీ ఏ టీచరూ ఇవ్వలేరు. కనుక తెలుగులో ఇటువంటి నవల రాసేవారు ‘అమ్మకు చెప్పింది, అంతా సర్దుకుంది’ అని ముగిస్తే చదివే పిల్ల నమ్మదు.

పాలపిట్ట

ఇక్కడ అందరికంటే చిన్నదాన్ని నేనే అనుకుంటాను, డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్నాను. పెద్దలు ఒక సంగతి గమనించాలి: ఇలాంటి పుస్తకం మా ఇళ్లలో దొరికితే అది మా చేతిలో ఉండదు, అమ్మానాన్నల చేతిలో ఉంటుంది. ‘చూశావా, ప్రేమిస్తే ఇదే గతి’ అని చెప్పడానికి దెబ్బలున్న నవల చక్కగా పనికొస్తుంది. దెబ్బ లేని నవలలో వాళ్లకు ఆ సౌకర్యం ఉండదు, ఎందుకంటే ఎవరితో మాట్లాడావు, ఎక్కడికి వెళ్లావు, ఆ బట్టలేమిటి అని నిలదీసే గొంతు అచ్చం ఇంట్లో వినిపించే గొంతులాగే ఉంటుంది. ఆ పోలిక రాయగలిగిన నవల వస్తే నేను డబ్బిచ్చి కొంటాను.

కొల్లేటికొంగ

పాలపిట్ట గారు చెప్పిన మాటకు నా దగ్గర జవాబు లేదు, దానిని ఖండించాలని కూడా లేదు. కృష్ణ ఒడ్డు గారి ఉదాహరణ కూడా బలమైనదే. అయినా నా అభ్యంతరం ఇంకా తీరలేదు. పెద్దవాళ్లు, పోలీసులు, కడకు ఆ అమ్మాయి ప్రాణస్నేహితురాలు కూడా నమ్మేది దెబ్బనే. ‘డ్రీమ్‌ల్యాండ్’లో కేట్లిన్‌కు సహాయం అందేది నలుగురూ చూశాకే. రచయిత్రి దానిని సులువైన మలుపుగా వాడుకుందని మీరనవచ్చు, లోకం అంతకుముందు కదలదని చూపించిందని నేనంటాను.

పైగా ముగింపు సంగతి ఏమిటి? దెబ్బ ఉన్న నవలకు ఆసుపత్రి, పోలీసులు, కోర్టు వచ్చి తలుపు మూస్తాయి. దెబ్బ లేని నవలలో ఆమె ఒక మంగళవారం నాడు అతని నంబరు బ్లాక్ చేస్తుంది. అంతేనా? అయిదు వందల పేజీలు మోసిన పాఠకురాలికి అది చాలుతుందా?

నల్లరేగడి

ముందు ‘ట్విలైట్’ గురించి. అక్కడ లోపించినది దెబ్బ కాదు, రెండో చూపు. ట్రక్కు కదలకుండా చేసినందుకు బెల్లా కోప్పడుతుంది, తరువాత పుస్తకం ఆ కోపాన్ని ఎడ్వర్డ్ అతిజాగ్రత్త కింద మాఫీ చేసేస్తుంది. ఆమెకు తోచిన అర్థాన్ని పక్కనుంచి ప్రశ్నించేవారు ఆ నవలలో గట్టిగా లేరు. ఫ్లిన్ నవలను దీని పక్కన పెట్టి చూడండి. కోర్టు నిక్‌ను హింస మానిపించే తరగతికి పంపి, వారానికి అయిదు వందల మాటల చొప్పున డైరీ రాయమంటుంది. డైరీలో గతం నడుస్తుంది, బయట వర్తమానం నడుస్తుంది. తాను ఆమెను ఎంత ప్రేమించాడో ఒక అధ్యాయంలో చెప్పుకుంటాడు, మరుసటి అధ్యాయంలో అదే వాదనను తరగతిలోని మరో కుర్రవాడి నోట వింటాడు. అతని మాట మీద మనకు నమ్మకం సడలేది అక్కడే, దెబ్బ దగ్గర కాదు. ఆ నిర్మాణంలోంచి దెబ్బను తీసేసినా అది కూలదని నేను అనుకుంటున్నాను.

ఇక ముగింపు. నంబరు బ్లాక్ చేయడంతో కథ ముగియదండీ, అసలు పరీక్ష అక్కడే మొదలవుతుంది. ఆమె వెళ్లిపోతానన్న రాత్రి ‘నువ్వు లేకపోతే చచ్చిపోతాను, నా చావుకు నువ్వే కారణమని రాసిపెడతాను’ అని కొత్త నంబరు నుంచి సందేశం వస్తుంది. దెబ్బ లేని నవలకు ఇంతకంటే బరువైన పతాకసన్నివేశం అక్కరలేదు. అతను నిజంగా ఏమైనా చేసుకుంటాడేమో ఆమెకు తెలియదు, మనకూ తెలియదు, బహుశా అతనికీ తెలియదు. తిరిగి వెళ్లడం, ఫోన్ కట్టేసి పడుకోవడం అనే రెండు దారులే ఉన్నాయని ఆమె అనుకుంటుంది. మూడోది ఉందని ఎవరో ఒకరు చెప్పాలి: అతని ప్రాణాన్ని కాపాడే బాధ్యతను వెంటనే అతని ఇంట్లో పెద్దలకో, రూమ్మేటుకో, 112కో అప్పగించి, తాను మాత్రం తిరిగి వెళ్లకపోవడం. రాత్రీ పగలూ పనిచేసే ప్రభుత్వ మానసిక సహాయ నంబరు 14416 ఉంది, పద్దెనిమిది నిండనివారికి 1098 ఉంది. నంబర్లను పుస్తకం చివర అట్ట మీద అచ్చువేస్తే ఎవరూ చూడరు. ఒక పాత్ర వణికే వేళ్లతో ఆ నంబరు కొట్టడం, అవతల ఎత్తినవారు తిట్టకుండా, ఇంటి పేరు అడగకుండా ‘అతను ఇప్పుడు ఎక్కడున్నాడమ్మా’ అని మొదలుపెట్టడం ఒక అధ్యాయమంతా రాయవచ్చు.

కృష్ణ ఒడ్డు గారు లేవనెత్తిన తండ్రి భయానికి ఆ అధ్యాయంలో పరిష్కారం ఉండదు, నిజమే. ఆ ఫోన్ తరువాత ఇంట్లో తెలిసి తీరుతుంది. మరుసటి అధ్యాయం ఆ ఇంట్లో జరగాలి, పాలపిట్ట గారు చెప్పిన ఆ రెండు గొంతుల పోలిక అక్కడే వినబడాలి.

కొల్లేటికొంగ

ఈ రెండు అధ్యాయాలు ఎవరైనా రాస్తే ఇక్కడే పెట్టండి. ఫోన్ ఎత్తినవారి మాటల్లో ఉపన్యాసం దొర్లితే మాత్రం నేను మళ్లీ దెబ్బ పక్షానికే వెళ్లిపోతాను. గ్రంథాలయం జాబితా మాటకొస్తే, ఫ్లిన్ నవలను నిస్సంకోచంగా చేర్చండి, ‘ఎక్లిప్స్’ను కూడా తీసేయవద్దు, రెండూ ఒకే అరలో పక్కపక్కన ఉంటే పిల్లలే పోట్లాడుకుంటారు.