త్రీ స్క్వేర్ ఫైల్ అంటే మూడు ఫైళ్ళా, మూడు పలకలా?

కొర్లగుంట హార్డువేర్:

అందరికీ నమస్తే. తిరుపతిలో మాకు చిన్న హార్డువేర్ షాపు ఉంది, నాన్న పెట్టింది. సరుకు ఎప్పుడూ తెలిసిన మనిషే తెచ్చి వేస్తాడు, ఈసారి కాస్త తక్కువకు వస్తుందని ఇంకో ఊరి హోల్‌సేల్ వాళ్ళ కేటలాగ్ చూసి ఫోన్లోనే ఆర్డర్ పెట్టినా. గ్రిల్ పని చేసే కుర్రాడొకడు చదరపు బెజ్జాలు సాపు చేసుకోవడానికి నాలుగు పలకల ఆకురాళ్ళు (అదే, ఇనుము అరగదీసే ఫైళ్ళు) కావాలని నెల రోజులుగా తిరుగుతున్నాడు, అతని కోసమని వెతికితే ఒకచోట 'త్రీ స్క్వేర్, 6 ఇంచి, బాస్టర్డ్' అని ఉంది. నేనేమనుకున్నానంటే, ప్యాకెట్‌కి మూడు స్క్వేర్ ఫైళ్ళు వస్తాయని. రేటు చూసి మూడింటికి ఇంతేనా అని సంబరపడి 10 చెప్పేసినా. 30 వస్తాయని ర్యాక్‌లో చోటు కూడా ఖాళీ చేసుకున్నా.

వచ్చినవి పదే పది. అవి కూడా మూడు పలకలవి! ఫోన్ చేస్తే అవతలాయన 'మీరు రాసిందే పంపాం, త్రీ స్క్వేర్ అంటే ట్రయాంగిలే' అని పెట్టేశాడు. తిరిగి తీసుకోరంట. మా అబ్బాయి ఇంటర్ ఎంపీసీ, వాడినడిగితే స్క్వేర్‌కి నాలుగు భుజాలుంటాయి, మూడుంటే అది స్క్వేరే కాదు, వాళ్ళు నిన్ను మోసం చేశారు నాన్నా అంటున్నాడు. ఇది నిజంగా ఇంగ్లీషులో ఉన్న మాటేనా, లేక ఆయన నా చెవిలో పువ్వు పెట్టాడా? తెలిసినవాళ్ళు చెప్పండి. పోట్లాడాలంటే ముందు మాట అర్థం తెలియాలి కదా.

చంద్రగిరి కుర్రోడు:

అన్నా, అది ప్రింటింగ్ తప్పు అయ్యుంటుంది. త్రీ సైడెడ్ అని రాయబోయి త్రీ స్క్వేర్ అని కొట్టి ఉంటారు. మన దగ్గర కేటలాగుల్లో ఇంగ్లీషు ఎట్లా ఉంటుందో తెలియనిదేముంది. గట్టిగా అడగండి.

పాత ఫిట్టర్:

తమ్ముడూ, ప్రింటింగ్ తప్పు కాదు, ఎవరూ మోసం చేయలేదు. నేను చిత్తూరు జిల్లా వాడినే, ఐటీఐలో ఫిట్టర్ ట్రేడ్ చేసి ముప్పై ఏళ్ళకు పైగా వర్క్‌షాపుల్లో పనిచేసి ఇంట్లో కూర్చున్నా. ఫైళ్ళకు పేర్లు వాటిని అడ్డంగా కోస్తే కనపడే ఆకారాన్ని బట్టి పెట్టారు. ఫ్లాట్, రౌండ్, హాఫ్ రౌండ్, స్క్వేర్, నైఫ్ ఎడ్జ్, ఈ వరసలోదే త్రీ స్క్వేర్. మూడు పలకలూ సమానం, మూలలు ఒక్కొక్కటి 60 డిగ్రీలు. పుస్తకంలో ట్రయాంగ్యులర్ ఫైల్ అని రాసేవాళ్ళు, మా మేస్త్రీ మాత్రం త్రీ స్క్వేర్ తే అనేవాడు. మొదటి వారం నేను కూడా స్క్వేర్ ఫైల్ తీసుకుపోయి ఇచ్చి తిట్లు తిన్నవాణ్ణే, కాబట్టి మీరొక్కరే కాదు, దిగులుపడకండి. ఆ మాటకొస్తే హాఫ్ రౌండ్ ఫైల్ కూడా సగం గుండ్రం కాదు, అడ్డంగా చూడండి, సగం కంటే తక్కువే ఉంటుంది. పేర్లను నమ్ముకుంటే పని జరగదు.

ఇంకొక విషయం, మీరు అమ్మేవారు కాబట్టి చెబుతున్నా. మూడు పలకలవన్నీ ఒకటే అనుకుని రంపాలకు పదును పెట్టేవాళ్ళకు ఇవి అంటగట్టకండి. రంపం పళ్ళకు, పళ్ళకు మధ్య సందు 60 డిగ్రీలే ఉంటుంది, అందుకే మూడు పలకల ఆకురాయి అందులో సరిగ్గా కూర్చుని ఒక్క తోపుకు ఒక పంటి ముందు వైపు, పక్క పంటి వెనక వైపు రెండూ అరగదీస్తుంది. కానీ దానికి వేరే ఫైల్ ఉంది, సా ఫైల్ అంటారు. దానికి గీతలు ఒకే వైపు ఏటవాలుగా ఉంటాయి, అంచులు కొంచెం గుండ్రంగా ఉండి వాటి మీద కూడా గీతలుంటాయి. త్రీ స్క్వేర్‌కి గీతలు అడ్డదిడ్డంగా ఒకదాన్నొకటి కోసుకుంటూ పోతాయి, అంచులు పదునుగా ఉంటాయి. అది ఇనుములో లోపలి మూలలు శుభ్రం చేయడానికి, 60 డిగ్రీలు దాటిన మూల ఏదైనా సరే. మీ గ్రిల్ కుర్రాడికి మాత్రం స్క్వేరే కావాలి, చదరపు బెజ్జం మూల 90 కదా, పలక సాపుగా ఆనాలి.

బాస్టర్డ్ అంటే మాత్రం బూతు కాదు, గరుకు రకం పేరు. మా క్లాసులో మొదటి రోజు అందరం నవ్వాం.

నిఘంటువు పిచ్చోడు:

ఫిట్టర్ గారు పని చెప్పారు, నేను మాట సంగతి చెబుతాను, కాస్త పొడుగవుతుంది, ఓపిక పట్టండి.

త్రీ స్క్వేర్ ఇంగ్లీషులో చాలా పాత విశేషణం, కొన్ని వందల ఏళ్ళ నాటిది. అప్పట్లో అంకె పక్కన స్క్వేర్ వస్తే 'అన్ని సమానమైన పలకలున్నది' అని అర్థం, అంతే. మూడయితే త్రీ స్క్వేర్, ఆరయితే సిక్స్ స్క్వేర్, ఎనిమిదయితే ఎయిట్ స్క్వేర్. అమెరికాలో పాత తుపాకుల గొట్టాలు ఎనిమిది పలకలతో ఉండేవి, వాటిని ఎయిట్ స్క్వేర్ అనేవారు. ఓడ తెరచాప కొయ్యలు చెక్కేవాళ్ళు ఇప్పటికీ ఆ మాట వదల్లేదు. ఇలాంటి మాట ఎక్కువగా కడ్డీ, కత్తి, కొయ్య లాంటి పొడవైన వస్తువుల గురించే వాడతారు. మీ అబ్బాయికి చెప్పండి, పరీక్షలో త్రిభుజాన్ని త్రీ స్క్వేర్ అని రాస్తే మార్కులు పోతాయి, లెక్కల్లో దానికి చోటు లేదు. ఇంకో చిక్కు ఏమంటే, సరిగ్గా రాస్తే ఆ రెండు మాటల మధ్య చిన్న అడ్డగీత ఉండాలి. కేటలాగ్ వాళ్ళు అది తీసేసరికి 'మూడు' విడిపోయి లెక్కలా కనపడింది.

ఈ కుటుంబంలో మామూలు ఇంగ్లీషులో బతికి బట్టకట్టింది ఫోర్‌స్క్వేర్ ఒక్కటే. 1611 నాటి ఇంగ్లీషు బైబిల్లో బలిపీఠం ఫోర్‌స్క్వేర్‌గా ఉండాలని ఉంటుంది, మన తెలుగు బైబిల్లో అక్కడ చచ్చౌకముగా అని రాశారు. ఎంత చక్కటి మాటో చూడండి, ఇప్పుడెవరూ వాడరు. ఇవాళ ఇంగ్లీషు పత్రికల్లో ఫోర్‌స్క్వేర్ అంటే ఆకారం కంటే 'గట్టిగా, కదలకుండా నిలబడి' అనే అర్థంలోనే ఎక్కువ కనిపిస్తుంది.

అసలు తమాషా ఇక్కడుంది. స్క్వేర్ అనే మాట లాటిన్ నుంచి పాత ఫ్రెంచి మీదుగా వచ్చింది, దాని వేరులో ఉన్నది నాలుగే. అంటే ఫోర్‌స్క్వేర్ అనడం నాలుగు-నాలుగు అనడం, త్రీ స్క్వేర్ అనడం మూడు-నాలుగు అనడం. అయినా పలికేవాడు వేరు తవ్వి చూసుకోడు కదా. మనమేం తక్కువ తిన్నామా? చదరం అంటేనే చతురశ్రం, అందులో నాలుగు ఉండనే ఉంది, దానికి మళ్ళీ ముందొక 'నలు' తగిలించి నలుచదరం అంటున్నాం. చౌకంలో ఉన్నదీ నాలుగే. పైగా మీరు చౌక చూసి చౌకం అడిగారు, ముక్కోణం వచ్చింది, ఏం చేస్తాం!

కొర్లగుంట హార్డువేర్:

నవ్వించారు సార్. మా అబ్బాయికి చదివి వినిపించినా, మూడు-నాలుగు దగ్గర వాడు ఒప్పుకోలేదు. 'అయితే ఇంగ్లీషు వాళ్ళకే లెక్క రాదు' అంటున్నాడు.

ఒక సందేహం. మరి మన భాషలో పలకలు ఎన్ని ఉంటే అన్ని అని చెప్పే పద్ధతి ఇంతకంటే సాపుగానే ఉంది కదా? ఆరు పలకల పెన్సిలు, ఎనిమిది పలకల గడ్డపార, ఇట్లా. మా షాపులో అందరూ అట్లానే అడుగుతారు.

మృదంగం:

అవును, సంస్కృతంలోనూ ఇబ్బంది లేదు. అశ్రం అంటే మూల, కాబట్టి త్ర్యశ్రం, చతురశ్రం, అష్టాశ్రం ఎన్నయినా పేర్చుకోవచ్చు, లోపల ఏ అంకే దాక్కుని ఉండదు. మేం తాళంలో రోజూ అనే తిశ్రం ఆ త్ర్యశ్రమే. మూడక్షరాల నడకకు మూడు మూలలది అని పేరు. పిల్లలకు చెప్పేటప్పుడు ఇన్నాళ్ళూ నేను కూడా ఆలోచించలేదు, మీ ఆకురాయి పుణ్యమా అని ఇవాళ తట్టింది.

రాతిపని:

ఎయిట్ స్క్వేర్ మాట విని ఆగలేక రాస్తున్నా. మా ఇంట్లో రాతిపని, అన్నయ్య కొయ్యపని. ఏ స్తంభమైనా ముందు చదరం, దాని మూలలు కొడితే ఎనిమిది పలకలు, మళ్ళీ కొడితే పదహారు, ఆ తర్వాతే గుండ్రం. ఒక్కసారిగా గుండ్రం చేద్దామని ఉలి పెడితే వంకర తిరుగుతుంది. గుళ్ళో శివలింగం కూడా శాస్త్ర ప్రకారం చెక్కితే అడుగున బ్రహ్మభాగం నాలుగు పలకలు, నడుమ విష్ణుభాగం ఎనిమిది, పైన రుద్రభాగం గుండ్రం. మనకు కనపడేది పైభాగమే, మిగతాది పీఠంలోనూ కిందా ఉంటుంది. గుడిమల్లం లింగం మాత్రం ఈ లెక్కలోకి రాదు, దాని దారి వేరు.

ఎనిమిది పలకలు సమానంగా రావడానికి ఒక కొలత ఉంది. చదరం ఒక వైపును 24 భాగాలు చేసి 7, 10, 7 గుర్తు పెట్టుకోండి. మూలల దగ్గరి ఆ ఏడేసి భాగాలను కొట్టేస్తే మధ్య పదే పలక. ఉదాహరణకు 6 అంగుళాల దిమ్మె అయితే 1¾, 2½, 1¾. ఖచ్చితంగా లెక్క వేస్తే వెంట్రుకవాసి తేడా ఉంటుంది, కొయ్యలో అది కనపడదు. లెక్క వద్దనుకుంటే కంపాస్ చాలు. మూల నుంచి చదరం నడిమధ్యకు ఎంత దూరమో అంత తెరిచి, నాలుగు మూలల నుంచీ వైపుల మీద గీతలు పెడితే ఎనిమిది గుర్తులు వస్తాయి, వాటిని కలిపేయడమే. నేనిది నేర్చుకున్నది కంపాస్‌తో కాదు, తాడుతో.

బెంగళూరు బస్సు:

ఇదంతా చదివాక నా బాధ కూడా చెబుతా. పలమనేరు నుంచి వచ్చి ఇక్కడ బెంగళూరులో ఇల్లు కట్టిస్తున్నా. మేస్త్రీ '12 స్క్వేర్ వస్తుంది సార్' అంటే 12 గదులేమో అని బిత్తరపోయా. ఇక్కడ స్క్వేర్ అంటే 100 చదరపు అడుగులంట, అంటే 1200 అడుగుల ఇల్లు. మన తిరుపతిలో అంకణం చాలా నయం, 6 అడుగులకు 6 అడుగులు, 36, అయిపోయింది. నెల్లూరు వెళ్తే మాత్రం అదే అంకణం 72 అవుతుంది, అది వేరే తగాదా.

పాత ఫిట్టర్:

ఆ తగాదా ఇక్కడ మొదలుపెట్టకండి, రాత్రికి తెగదు.

కొర్లగుంట హార్డువేర్:

అందరికీ థాంక్స్. హోల్‌సేల్ ఆయనకు ఫోన్ చేసి తప్పు నాదేనని ఒప్పుకున్నా, ఆయన కూడా మెత్తబడి ఈసారి స్క్వేర్ ఫైళ్ళు రవాణా చార్జీ లేకుండా పంపుతా అన్నాడు. వచ్చినవి ఫిట్టర్ గారు చెప్పినట్టు పట్టి చూసినా, గీతలు అడ్డదిడ్డంగానే ఉన్నాయి, అంచులు వేలికి తగిలేంత పదును. డబ్బా మీద మార్కర్‌తో 'మూడు పలకలు, రంపానికి కాదు' అని రాసిపెట్టినా. పొద్దున ఒక వెల్డింగ్ ఆయన రెండు పట్టుకెళ్ళాడు. ఇంకా ఎనిమిది ఉన్నాయి, తిరుపతి చుట్టుపక్కల ఎవరికైనా కావాలంటే రండి.