హైదరాబాద్‌లో ఏళ్లు ఎటు పోతున్నాయో తెలియట్లేదు, మీకూ ఇంతేనా?

నిజాంపేట్‌వాసి:
మెట్రో మొదలైన 2017లోనే ఉద్యోగానికి ఇక్కడికి వచ్చాను. నిన్నమొన్నటి సంగతిలా ఉంది, మధ్యలో ఏం చేశావని ఎవరైనా అడిగితే చెప్పడానికి ఒక్కటీ తోచదు. ఆదివారం సాయంత్రం మాత్రం ఎంతకీ గడవదు. పక్క ఫ్లాట్ పాపకి స్కూలు బూట్లు కొత్తవి కొన్నారని వాళ్ల చెప్పుల స్టాండ్ చూసి తెలుస్తుంది గానీ ఆ పాప పేరేంటో తెలియదు, మా వాట్సాప్ గ్రూపులో వాటర్ ట్యాంకర్ గొడవ తప్ప ఇంకో మాట ఉండదు. ఏళ్లేమో పరుగు, సాయంత్రాలేమో కదలవు. ఎందుకిలా?

పాతబస్తీ95:
రెండూ ఒకచోటి నుంచే వస్తాయి బ్రో. చేయడానికేం లేక గడియారం మీదే ధ్యాస ఉంటే గంట సాగుతుంది. వెనక్కి తిరిగి చూసినప్పుడు మాత్రం ఎన్ని సంగతులు గుర్తున్నాయో దాన్నిబట్టే ఏడాది పెద్దదిగానో చిన్నదిగానో అనిపిస్తుంది. రోజూ అదే రూటు, అదే టిఫిన్, అదే స్క్రీన్ అయితే గుర్తుండటానికి ఏముంటుంది? చిన్నప్పటి వేసవి సెలవులు అంత పొడుగ్గా ఉండేవంటే అప్పుడన్నీ కొత్తే కదా.

చిక్కడపల్లి పెద్దమ్మ:
బాబూ, మా పిల్లలిద్దరూ అమెరికాలో ఉన్నారు కాబట్టి నీ బాధ నాకు తెలుసు. పేరు అడగడానికి మొహమాటమైతే ఏదైనా సాయం అడుగు. సంక్రాంతికి ఊరెళ్లేటప్పుడు మొక్కలకి నీళ్లు పొయ్యమని వాళ్లకి తాళం ఇచ్చి చూడు, మనం సాయం చేస్తామంటే జనం ఆలోచిస్తారు గానీ మనం అడిగితే కాదనరు. నేనైతే సాయంత్రాలు త్యాగరాయ గానసభకి వెళ్తాను. కచేరీ అయ్యాక గేటు దగ్గర నిలబడి మాట్లాడుకునే అరగంట కోసమే సగం వెళ్లడం.

నైట్‌షిఫ్ట్:
అందరికీ సాయంత్రాలు దొరకవు పెద్దమ్మా. నేను డ్యూటీకి బయల్దేరేసరికి ఊరంతా ఇళ్లకి చేరుతుంటుంది, నాతో రోజూ మాట్లాడేది క్యాబ్ డ్రైవరన్న ఒక్కడే. ఇది మన చేతగానితనం అనుకోవద్దు. ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరిని ఇలాంటి ఒంటరితనమే వేధిస్తోందని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025 నివేదికలో చెప్పింది. మరీ భారంగా ఉంటే 14416కి చెయ్యండి, మానసిక ఇబ్బందులకి ప్రభుత్వం నడిపే టెలీ మానస్ ఫ్రీ లైన్ అది, తెలుగులోనే మాట్లాడొచ్చు.

నిజాంపేట్‌వాసి:
థాంక్స్ అందరికీ. తాళం ఐడియా ఈ పండక్కే చేస్తాను. పెద్దమ్మా, గానసభకి టికెట్ ఉంటుందా?

చిక్కడపల్లి పెద్దమ్మ:
చాలా ప్రోగ్రాములకి ఉండదు నాయనా. చిక్కడపల్లిలో మెట్రో దిగి ఎవర్నడిగినా చెబుతారు. కాస్త ముందే రా, ఫ్యాన్ కింద సీట్లు తొందరగా నిండిపోతాయి.