శ్రీలంకకు బియ్యం, భూటాన్‌కు రెండు వేల కోట్లు: ఈ సహాయం వల్ల ఎవరికి మేలు?

వేళచ్చేరి వాసి (ప్రశ్న):

సభ్యులకు నమస్కారం. మాది నెల్లూరు జిల్లా. ఉద్యోగరీత్యా పదకొండేళ్లుగా చెన్నైలో ఉంటున్నాను. మా అపార్ట్‌మెంటులోని తెలుగు కుటుంబాలవారం నెలకొకసారి కలుస్తుంటాము. ఈసారి మన దేశం విదేశాలకు చేసే సహాయం మాటల్లోకి వచ్చి, వడ్డించిన భోజనాలు చల్లారిపోయేదాకా వాదన సాగింది. 2022 మే నెలలో శ్రీలంక తిండిగింజలకూ మందులకూ అల్లాడుతున్నప్పుడు తమిళనాడు ప్రభుత్వం చెన్నై ఓడరేవు నుంచి మొదటి విడతగా 9,000 టన్నుల బియ్యం, 200 టన్నుల పాలపొడి, 24 టన్నుల మందులు పంపింది. ఇక్కడి కూవం నది ఒడ్డున గుడిసెల్లో బతుకుతున్నవారిని వదిలేసి సముద్రం అవతలివారికి పెట్టడం ఏమి న్యాయమని మా పై అంతస్తు పెద్దాయన అడిగారు. ఆయనకు సూటిగా జవాబు చెప్పలేకపోయాను.

ఇంటికి వచ్చి లెక్కలు చూశాను. 2024-25 కేంద్ర బడ్జెట్‌లో భూటాన్‌కు 2,068 కోట్లు, నేపాల్‌కు 700 కోట్లు, మాల్దీవులకు 400 కోట్లు కేటాయించారు. మరోవైపు, 1961 నుంచి పనిచేసిన అమెరికా సహాయ సంస్థ యు.ఎస్.ఎయిడ్ 2025 జూలైలో మూతపడింది. బ్రిటన్ తన జాతీయాదాయంలో 0.5 శాతంగా ఉన్న సహాయాన్ని 2027 నాటికి 0.3 శాతానికి తగ్గిస్తానని ప్రకటించింది. కలిగినవాళ్లే చెయ్యి వెనక్కి తీసుకుంటున్న కాలంలో మనం చెయ్యి చాచి ఇవ్వడం విజ్ఞతేనా? అంతకన్నా ముఖ్యంగా, పుచ్చుకున్న దేశాలు దీనివల్ల నిజంగా బాగుపడతాయా? తెలిసినవారు వివరంగా రాయగలరు.

పాత మాంబళం:

వేళచ్చేరి గారూ, మీ రెండో ప్రశ్నకు నా బాల్యమే ఒక సాక్ష్యం కాబట్టి దానితోనే మొదలుపెడతాను. నేను అద్దంకి దగ్గర ఒక పల్లెలో పుట్టాను. 1960లలో మా బడిలో మధ్యాహ్నం గోధుమరవ్వ ఉప్మా పెట్టి, పాలపొడి కలిపిన పాలు పోసేవారు. మేము సత్తు గిన్నెలు పట్టుకొని వరుసలో నిలబడేవాళ్లం. అది అమెరికా నుంచి వస్తుందని మేస్టారు చెప్పేవారు. ఆ ఉప్మా కోసమే బడికి వచ్చిన పిల్లలు మా తరగతిలో సగానికి సగం ఉండేవారు కనుక, సహాయం వృథా అని ఎవరైనా అంటే నా మనసు ఒప్పుకోదు.

అయితే పెద్దయ్యాక చదివిన చరిత్ర మరోలా ఉంది. అమెరికా 1954లో చేసిన పబ్లిక్ లా 480 కింద, 1956లో మనతో కుదిరిన ఒప్పందం ప్రకారం, అక్కడ మిగులుగా ఉన్న గోధుమలను మనం రూపాయలు చెల్లించి తెచ్చుకునేవాళ్లం. వారి రైతుకు గిట్టుబాటు ధర దక్కింది, మనకు డాలర్లు ఖర్చు కాలేదు. 1965, 1966 సంవత్సరాలలో వరుసగా వానలు ముఖం చాటేసినప్పుడు ఒక్క 1966లోనే సుమారు కోటి టన్నుల తిండిగింజలు దిగుమతి చేసుకోవలసి వచ్చింది. సరిగ్గా అప్పుడే అధ్యక్షుడు జాన్సన్ దీర్ఘకాలిక ఒప్పందం వద్దని, నెలల లెక్కన ఓడలను విడుదల చేయడం మొదలుపెట్టాడు. వియత్నాం యుద్ధంపై మనం చేసిన విమర్శ ఆయనకు రుచించకపోవడం కూడా అందుకు ఒక కారణం. అదే ఏడాది జూన్‌లో, దాతల ఒత్తిడి మధ్య రూపాయి విలువను డాలరుకు 4.76 నుంచి 7.50కి దించవలసి వచ్చింది. దానికి బదులుగా రావలసిన సొమ్ము మాత్రం చెప్పినంత రాలేదు. పెట్టినమ్మ చెయ్యి ఎప్పుడూ పైనే ఉంటుందని మా నాయనమ్మ అంటుండేది.

మన కష్టాన్ని తీర్చింది ఆ గోధుమల ఓడలు కావు. నాటి వ్యవసాయ మంత్రి, తమిళనాడుకు చెందిన సి. సుబ్రహ్మణ్యం గారు 1966లో మెక్సికో నుంచి 18,000 టన్నుల పొట్టి గోధుమ విత్తనాలు తెప్పించారు. ఆ విత్తనాల వెనుక విదేశీ పరిశోధన ఉంది, విదేశీ విరాళం ఉంది, కాబట్టి అదీ ఒక విధంగా సహాయమే. కాకపోతే ఏది తెచ్చుకోవాలో ఇక్కడి శాస్త్రవేత్తలు, ఇక్కడి మంత్రి నిర్ణయించుకున్నారు. గింజలు పంపిన సహాయానికీ విత్తనాలు పంపిన సహాయానికీ తేడాను ఇంతకన్నా బాగా చూపే ఉదాహరణ నాకు తెలియదు.

ఒక చిన్న ముచ్చట: ఆ గోధుమలకు మనం కట్టిన రూపాయలు ఇక్కడే గుట్టగా పేరుకుపోతే, 1974లో అమెరికా 1,664 కోట్ల రూపాయల చెక్కును మన ప్రభుత్వానికి తిరిగి రాసిచ్చింది. ఇక చేలగట్లన్నీ ఆక్రమించిన వయ్యారిభామ మొక్క కూడా ఆ గోధుమల వెంటే వచ్చిందని మా ఊళ్లో ఇప్పటికీ చెప్పుకుంటారు.

పెరంబూరు:

పెద్దల అనుభవాన్ని గౌరవిస్తూనే ఒక మాట. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు. అంతకు మించి, మనం దీన్ని సహాయం అని పిలవడమే నాకు అభ్యంతరం. మన ఎగుమతి-దిగుమతి బ్యాంకు (ఎగ్జిమ్ బ్యాంకు) ఆఫ్రికా దేశాలకు ఇచ్చే ఋణ సదుపాయాలలో సాధారణంగా 75 శాతం సరుకులూ సేవలూ భారతదేశం నుంచే కొనాలని షరతు ఉంటుంది. నిర్మాణ పనులైతే దీన్ని కొంత సడలిస్తారు. జాన్సన్ చేసినది తప్పయితే ఇది ఒప్పు ఎలా అవుతుంది? అప్పు ఇచ్చి మన సరుకు అమ్ముకుంటున్నాం. అది వ్యాపారం, వ్యాపారమనే చెప్పుకుందాం.

తరమణి:

నేను ప్రజారోగ్య రంగంలో చాలాకాలం పనిచేశాను. పెరంబూరు గారి అభ్యంతరం న్యాయమైనదే, కానీ అది సహాయం మొత్తానికి వర్తించదు. తమిళనాడు పంపిన బియ్యం, పాలపొడి, మందులు ఉచితంగా ఇచ్చినవి. మొత్తం పథకం 40,000 టన్నుల బియ్యంతో కలిపి 123 కోట్ల రూపాయలు, అంటే 2011 జనాభా లెక్కన తమిళనాడులో తలకు పదిహేడు రూపాయలు. అదే సంవత్సరం కేంద్రం శ్రీలంకకు అందించిన సుమారు 400 కోట్ల డాలర్ల తోడ్పాటులో ఎక్కువ భాగం పెట్రోలుకూ నిత్యావసరాలకూ ఇచ్చిన అప్పులు, చెల్లింపుల వాయిదాలు, కరెన్సీ మార్పిడి. ఈ రెంటినీ ఒకే గంపలో వేసి తూచితే లెక్క తప్పుతుంది. ఇక భూటాన్ కేటాయింపు, ఆ ఏడాది కేంద్రం పెట్టిన 48.2 లక్షల కోట్ల మొత్తం ఖర్చులో వంద రూపాయలకు నాలుగు పైసలు. అందులోనూ కొంత తిరిగి రావలసిన అప్పే.

ధనిక దేశాల లెక్కలనూ కొంచెం అనుమానంగానే చూడాలి. జాతీయాదాయంలో 0.7 శాతం ఇవ్వాలన్న లక్ష్యాన్ని ఐక్యరాజ్యసమితి 1970లోనే పెట్టింది. 2024లో ఆ మెట్టు ఎక్కినవి నార్వే, స్వీడన్, డెన్మార్క్, లక్సెంబర్గ్ అనే నాలుగు దేశాలే. దాతలందరి సగటు 0.33 శాతం. తమ గడ్డ మీదికి వచ్చిన శరణార్థుల మొదటి ఏడాది పోషణ ఖర్చును కూడా వారు ఈ పద్దులోనే రాసుకుంటారు, అంటే ఆ సొమ్ములో కొంత ఆ దేశాల పొలిమేర దాటనే దాటదు.

సహాయం నిలబడిందా లేదా అన్నది చూడడానికి మన చెన్నైలోనే తగినన్ని ఉదాహరణలున్నాయి. 1959లో పశ్చిమ జర్మనీ సహకారంతో మొదలైన మద్రాసు ఐ.ఐ.టి.ని ఇప్పుడు ఎవరూ జర్మనీవారిది అనుకోరు. సోవియట్ సహాయంతో నందంబాక్కంలో పెట్టిన ఐ.డి.పి.ఎల్. (కేంద్ర ప్రభుత్వ మందుల సంస్థ) శస్త్రచికిత్స పరికరాల కర్మాగారం కథ వేరు. రష్యా నమూనాలో చేసిన పరికరాలు ఇక్కడి సర్జన్ల చేతికి ఇమడక, దాని సామర్థ్యంలో పెద్ద భాగం పనిలోకే రాలేదు. సంస్థ అదే, దాత అదే, హైదరాబాదులో పెట్టిన మందుల కర్మాగారం మాత్రం ఒక తరం రసాయన శాస్త్రజ్ఞులకు బడి అయింది. డాక్టర్ రెడ్డీస్‌ను 1984లో స్థాపించిన అంజిరెడ్డి గారు అక్కడ పనిచేసినవారే. ఆ వాతావరణంలో పెరిగిన హైదరాబాదు పరిశ్రమ నుంచి అరబిందో, హెటిరో వంటి కంపెనీలు హెచ్.ఐ.వి. మందులు చౌకగా చేశాయి. 2003లో అధ్యక్షుడు బుష్ మొదలుపెట్టిన పెప్‌ఫార్ అనే హెచ్.ఐ.వి. సహాయ కార్యక్రమం ఆఫ్రికా రోగుల కోసం ఆ మందులను కొనుగోలు చేసింది. సోవియట్ వారు హైదరాబాదు బాలానగర్‌లో వేసిన పునాది, అమెరికా సొమ్ముతో ఆఫ్రికాలో ప్రాణాలు కాపాడడానికి పనికి వచ్చిందన్నమాట. ఇచ్చినవారు ఎవరూ దీన్ని ఊహించి ఉండరు.

మన దేశంలో హెచ్.ఐ.వి. మొదట బయటపడింది కూడా ఇక్కడే, 1986లో. 1995 నుంచి యు.ఎస్.ఎయిడ్ నిధులతో ఇక్కడి వాలంటరీ హెల్త్ సర్వీసెస్ అనే స్వచ్ఛంద సంస్థ ఆధ్వర్యంలో తమిళనాడులో నివారణ కార్యక్రమం నడిచింది. లారీ డ్రైవర్లతో, సెక్స్ వర్కర్లతో సిగ్గుపడకుండా మాట్లాడడం ఎలాగో చాలామంది ఆరోగ్య కార్యకర్తలు అక్కడే నేర్చుకున్నారు. డబ్బు బయటిది, ఆ మాట్లాడిన భాషా మనుషులూ ఇక్కడివారే.

ఇక మనం ఇచ్చినదానిలో నాకు నచ్చినది శ్రీలంకలోని 1990 అంబులెన్సు సేవ. మన తెలుగునాట 2005లో 108గా మొదలైన పద్ధతినే, దాన్ని నడిపిన సంస్థ సాయంతోనే, భారత గ్రాంటుతో 2016లో అక్కడ రెండు రాష్ట్రాలలో 88 వాహనాలతో ప్రారంభించారు. తరువాత దేశమంతటికీ విస్తరించారు. 2018లో శ్రీలంక పార్లమెంటు చట్టం చేసి, దాని నిర్వహణకు సొంత ఫౌండేషన్ ఏర్పాటు చేసుకుంది. పెరంబూరు గారి 75 శాతం షరతుకు ఇందులో చోటు లేదు.

పెరంబూరు:

అంబులెన్సుల విషయం ఒప్పుకుంటాను. భూటాన్ విషయం మాత్రం ఒప్పుకోను. చుఖా జలవిద్యుత్ కేంద్రానికి మనం 60 శాతం గ్రాంటు, 40 శాతం అప్పు ఇచ్చాం. ఆ కరెంటు మనకే అమ్మి వారు బాగుపడ్డారు, మనమూ లాభపడ్డాం. 2008లో మొదలుపెట్టిన పునాత్సాంగ్‌ఛు మొదటి ప్రాజెక్టుకు వచ్చేసరికి అది తిరగబడి 40 శాతం గ్రాంటు, 60 శాతం అప్పు అయింది. కొండచరియ జారి ఆనకట్ట పని ఏళ్ల తరబడి ఆగిపోయింది. పని ఆగినా వడ్డీ ఆగదు కదా. చిన్న దేశం నెత్తిన అంత అప్పు పెట్టడాన్ని కూడా స్నేహం పద్దులోనే రాయమంటారా?

తరమణి:

రాయమనను. మొదటి నిష్పత్తిని మార్చడమే పొరపాటని నా అభిప్రాయం కూడా.

వేళచ్చేరి వాసి:

అందరికీ కృతజ్ఞతలు. నాలుగు పైసల లెక్క, తలకు పదిహేడు రూపాయల లెక్క వచ్చే నెల పెద్దాయనకు చెబుతాను. ఒక అనుబంధ ప్రశ్న. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రపంచ బ్యాంకు నుంచి తీసుకున్న అప్పుల సంగతి ఎవరూ రాయలేదు. విద్యుత్ సంస్కరణల పేరిట చార్జీలు పెంచినప్పుడు, 2000 ఆగస్టు 28న బషీర్‌బాగ్‌లో కాల్పులు జరిగి ప్రాణాలు పోవడం నాకు గుర్తుంది. అప్పుడు నేను ఇంటర్ చదువుతున్నాను. అదే బ్యాంకు అప్పుతో అదే సంవత్సరం మొదలైన, ఆడవాళ్ల పొదుపు సంఘాల ద్వారా పల్లెల్లో పేదరికం తగ్గించే వెలుగు పథకం గురించి మాత్రం మా ఊళ్లో చెడు మాట వినలేదు. ఒకే దాత, ఒకే ప్రభుత్వం, ఒకే కాలం. ఫలితంలో ఇంత తేడా ఎందుకు వచ్చినట్లు?

పాత మాంబళం:

మీరు నెల్లూరువారే కాబట్టి జవాబు మీ జిల్లాలోనే ఉంది. సారా వ్యతిరేక ఉద్యమం దూబగుంటలో రాజుకున్న తరువాత, 1990ల మొదట్లో మీ జిల్లా ఆడవాళ్లు రోజుకు రూపాయి చొప్పున పొదుపు చేసుకోవడం మొదలుపెట్టారు. కర్నూలు, మహబూబ్‌నగర్, అనంతపురం జిల్లాలలో ఐక్యరాజ్యసమితి అభివృద్ధి కార్యక్రమం ఆ దశాబ్దం మధ్యలో ఇటువంటి పొదుపు సంఘాలను గ్రామ స్థాయిలో కూడగట్టింది. వెలుగు అప్పు వచ్చేసరికి ఊరూరా సంఘం ఉంది, తీర్మానాల పుస్తకం ఉంది, బ్యాంకుకు వెళ్లి మాట్లాడగల మనిషి ఉంది. 2011లో కేంద్రం జాతీయ గ్రామీణ జీవనోపాధుల మిషన్ పెట్టినప్పుడు ఆ అనుభవాన్నే ఆధారం చేసుకున్నది. విద్యుత్ చార్జీల విషయంలో అటువంటి సంఘం ఒక్కటీ లేదు. షరతు కాగితం మీద పైనుంచి దిగింది, బిల్లు ఇంటికి వచ్చింది.

వేళచ్చేరి వాసి:

మా అమ్మ దగ్గర ఆనాటి పొదుపు పుస్తకం ఇంకా ఉంది. మొదటి పేజీలో ముప్ఫై రూపాయలు, 1994. అందులో ఏ బ్యాంకు పేరూ, ఏ దేశం పేరూ లేదు. ఈసారి ఊరికి వెళ్లినప్పుడు ఫోటో తీసి ఇక్కడ పెడతాను.