ఒక్క వేషమా, వందల వేషాలా?

నాగావళి (రాయగడ): కోట శ్రీనివాసరావు గారు 2025 జూలైలో కన్నుమూసినప్పటి నుంచి మా ఇంట్లో ఒక వాదన తెగడం లేదు. 1978లో చిత్రరంగానికి వచ్చి, నాలుగు దశాబ్దాలకు పైగా వందల వేషాలు వేసిన ఆయన గొప్పవారా, లేక ఒక్క శంకరశాస్త్రి వేషంతో నిలిచిపోయిన జె.వి. సోమయాజులు గారు గొప్పవారా అని మా మామగారికీ మా వారికీ పట్టుదల. ఒడిశాలో ఉన్న మన తెలుగు పెద్దలు ఏమంటారు?

మహేంద్రగిరి (పర్లాకిమిడి): అమ్మా, మీ మామగారు ఎవరి పక్షమో తెలియదు కానీ నేను సోమయాజులు గారి పక్షం. శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారంలో పుట్టి, డిప్యూటీ కలెక్టరుగా ఉద్యోగం చేసి, యాభై దాటాక అంతటి పేరు తెచ్చుకున్న నటుడు మరొకరు నాకు కనిపించరు. 1980లో మా నాన్నగారు నన్ను సరిహద్దు దాటించి పాతపట్నంలో ‘శంకరాభరణం’ చూపించారు. చివరి కచేరీలో శంకరశాస్త్రి గొంతు ఆగిపోయి శిష్యుడు పాట అందుకునే చోట, మా ముందు వరుసలో అప్పుడే బీడీ వెలిగించిన మనిషి దానిని చెప్పు కింద నలిపేసి చేతులు కట్టుకున్నాడు. వందల వేషాలతో ఆ పని జరుగుతుందా?

ఋషికుల్య (బరంపురం): మాస్టారూ, మీరు చెప్పినది కథానాయకుని పాత్ర. అమ్మగారి ప్రశ్నేమో జీవితమంతా పక్క వేషాలతో నిలబడిన నటుని గురించి. ‘అహ నా పెళ్ళంట’లో పైనుంచి వేలాడే కోడిని చూస్తూ వట్టి అన్నం తినే లక్ష్మీపతిని తలుచుకోండి, కథానాయకుడు ఎవరో తరువాత గుర్తుకు వస్తాడు. మరొక మాట. మా బరంపురంలో దూరదర్శన్ పెడితే ఒడియా, లేదంటే హిందీ వచ్చేది. 1995లో జెమిని, ఈటీవీ మొదలై కేబుల్ మా వీధికి వచ్చాకే తెలుగు ఇంట్లోకి వచ్చింది. మా పిల్లలు థియేటరు మొహం చూడకుండానే కోట గారిని గుర్తుపట్టారు.

మహేంద్రగిరి: కథానాయకుడని తేల్చేసి పక్కన పెట్టడం అన్యాయం. 1981లో వచ్చిన ‘సప్తపది’లో ఆయన తాతగారు. తాతగారు కథానాయకుడు ఎలా అవుతారో చెప్పండి.

వంశధార (గుణుపురం): ఆ కథను నడిపించింది తాతగారే కదండీ.

మహేంద్రగిరి: నడిపించినంత మాత్రాన కథానాయకుడు కాడు. ఈ తేడా తెలియకుండా చర్చ చేయడం వృథా.

ఋషికుల్య: తాతగారి సంగతి వదిలేద్దాం. కోట గారిది కృష్ణా జిల్లా కంకిపాడు. అయినా 1985లో ‘ప్రతిఘటన’ కోసం తెలంగాణ మాట పట్టుకుని, అది తన ఇంటి మాటే అన్నట్లు పలికారు. మీ సోమయాజులు గారు మన కళింగాంధ్ర గడ్డ మీద పుట్టారు. తెర మీద మన మాట ఒక్కటైనా పలికారా?

మహేంద్రగిరి: శంకరశాస్త్రి చేత “ఏటి” అనిపించమంటారా? రంగస్థలం మీద తమ్ముడు రమణమూర్తి గారు గిరీశంగా, ఆయన రామప్పపంతులుగా గురజాడ వారి విజయనగరం మాటను వినిపించిన సంగతి మీకు తెలియనట్లుంది. 1936లో మా ఊరు ఒడిశాలో కలిసింది. మా మనుమలు ఒడియా బడిలో చదువుతున్నారు, తెలుగు అక్షరాలు రావు. శుభ్రమైన తెలుగు వాళ్ళ చెవిన పడేది ఇలాంటి నటుల వల్లనే. దానిని కూడా తప్పు పడితే మాకు మిగిలేది ఏమిటి?

నాగావళి: మాస్టారూ, కోపగించుకోకండి. సీరియల్లో పనిమనిషి మాట్లాడుతుంటే మా పాప, “అమ్మా, ఈమె అమ్మమ్మలాగే మాట్లాడుతోంది, అందరూ ఎందుకు నవ్వుతున్నారు?” అని అడిగింది. నాకు జవాబు దొరకలేదు.

ఋషికుల్య: అమ్మగారు చెప్పారు కాబట్టి నేనూ చెబుతాను. ఇరవై ఏళ్ళు ఊళ్ళో నాటకాలు ఆడిన ధైర్యంతో ఒక సీరియల్ వారి దగ్గరకు హైదరాబాదు వెళ్ళాను. పురోహితుని వేషానికి పద్యం చదివాను, సంభాషణ చెప్పాను. “పద్యం బాగుంది, మాట శుభ్రంగా లేదు, వంటవాని వేషమైతే చూద్దాం” అన్నారు. శుభ్రమైన తెలుగు అని మీరు రాసినప్పుడు నాకు ఆ గది గుర్తుకు వచ్చింది మాస్టారూ. సోమయాజులు గారి మీద నాకు ద్వేషం లేదు. నాటకంలో పనికివచ్చిన నోరు కెమెరా ముందుకు వచ్చేసరికి ఎందుకు మార్చుకోవలసి వచ్చిందన్నదే నా ప్రశ్న.

మహేంద్రగిరి: మీ అనుభవానికి బాధగా ఉంది బాబూ. అయినా శంకరశాస్త్రి విషయంలో నా మాట మారదు.

వంశధార: ఇంతకీ ఆ వంటవాని వేషం వేశారా, లేదా?

ఋషికుల్య: వేశాను. రెండు ఎపిసోడ్లు. నాకు గొంతు మాత్రం వేరొకరు చెప్పారు.