ఏఎస్/400 మీద పాత ఆర్‌పీజీ కోడ్ చదవాలి, ఏ పుస్తకంతో మొదలుపెట్టను?

ప్రశ్న

అందరికీ నమస్కారం. కొన్నేళ్లుగా జావాలో పనిచేస్తున్నాను. ఈమధ్య నన్ను సరుకు నిల్వలు, ఇన్‌వాయిస్‌లు చూసుకునే ఒక పాత సిస్టమ్‌కి మార్చారు. అది నడిచే ఐబీఎం యంత్రాన్ని టీంలో అందరూ ఏఎస్/400 అంటారు, పత్రాల్లో మాత్రం ఐబీఎం ఐ అని ఉంది. కోడంతా ఆర్‌పీజీ అనే ప్రోగ్రామింగ్ భాషలో ఉంది. రాసినవాళ్లలో ఒక్కాయనే మిగిలారు, ఆయన రిటైర్మెంట్ కూడా దగ్గర్లోనే ఉంది.

పుస్తకాలు వెతకబోతే తల తిరిగిపోతోంది. ఒకదాని మీద ఆర్‌పీజీ/400, ఇంకోదాని మీద ఆర్‌పీజీ ఫోర్, మరోదాని మీద ఐఎల్ఈ ఆర్‌పీజీ. ఇవన్నీ ఒకటేనా? పాతవి సెకండ్ హ్యాండ్‌లో చవగ్గా దొరుకుతున్నాయి. ముప్పై ఏళ్ల కిందటి పుస్తకం కొంటే డబ్బు దండగా? ఏ వరసలో చదవాలో తెలిసినవాళ్లు చెప్పండి.

జవాబు

దండగ కాదండీ. మీ విషయంలో పాత పుస్తకమే ముందు కొనాల్సి రావచ్చు కూడా. యంత్రం మీది పేరూ పుస్తకం మీది ఏడాదీ పక్కన పెట్టండి. మీరు చదవబోయే కోడ్ వయసెంతో చూసుకుని, దాన్నిబట్టి పుస్తకం ఎంచుకోండి.

ముందు పేర్ల సంగతి. ఏఎస్/400 1988లో వచ్చింది. 2000లో ఐసిరీస్ అయింది, తర్వాత సిస్టమ్ ఐ అన్నారు, 2008 నుంచి పవర్ సర్వర్ల మీద నడిచే ఐబీఎం ఐ అంటున్నారు. వాడేవాళ్ల నోట్లో పాత పేరే నిలిచిపోయింది. భాష ఇంకా పాతది, 1959 నాటిది. అంతకుముందు ఐబీఎం యంత్రం సిస్టమ్/38తో వచ్చిన ఆర్‌పీజీ త్రీనే కొద్ది మార్పులతో ఏఎస్/400 మీద ఆర్‌పీజీ/400 అన్నారు. 1994లో ఆర్‌పీజీ ఫోర్ వచ్చింది. ఐఎల్ఈ ఆర్‌పీజీ అన్నా అదే. 2001లో లెక్కల భాగాన్ని ఏ ముక్క ఏ కాలమ్‌లో ఉండాలన్న బెడద లేకుండా ఫ్రీ ఫార్మాట్‌లో రాసుకునే వీలు వచ్చింది, 2013లో ఫైళ్ల, డేటా నిర్వచనాలకీ వచ్చింది. కాబట్టి మీరు చూసిన మూడు పేర్లలో ఉన్నవి రెండే తరాలు.

ఈ యంత్రం మీద పాత ప్రోగ్రామ్ అంత తేలిగ్గా మూలపడదు. కంపైల్ చేసిన ప్రోగ్రామ్‌కీ అసలు ప్రాసెసర్‌కీ మధ్య ఒక పొర ఉంటుంది. 1995లో ప్రాసెసర్ రకమే మారిపోయి 64 బిట్లకి వెళ్లినప్పుడు కూడా చాలా ప్రోగ్రాములు సోర్స్‌తో పని లేకుండానే కొత్త యంత్రానికి మారిపోయాయి. అందుకే తొలి రోజుల్లో రాసిన కోడ్, నిన్న రాసిన కోడ్ ఒకే లైబ్రరీలో పక్కపక్కన నడుస్తుంటాయి. కొత్త పుస్తకం ఒక్కటే చదివి వెళ్తే మొదటి రోజే పాత కోడ్ ఎదురై ఏమీ పాలుపోదు.

అందుకని ఏదీ కొనకముందు పీడీఎం అనే సాధనంలో సోర్స్ మెంబర్ల, అంటే ప్రోగ్రాముల సోర్స్‌ల, జాబితా తెరిచి టైప్ అన్న కాలమ్ చూడండి. ఆర్‌పీజీ అని ఉంటే మూడో తరం, అంటే ఆర్‌పీజీ త్రీ లేదా ఆర్‌పీజీ/400. ఆర్‌పీజీఎల్ఈ అని ఉంటే నాలుగో తరం, అంటే ఆర్‌పీజీ ఫోర్. దానికి ముందు ఎస్‌క్యూఎల్ అని చేరితే లోపల ఎస్‌క్యూఎల్ వాక్యాలూ ఉన్నట్టు. ఆర్‌పీజీ36 కనిపిస్తే అది సిస్టమ్/36 అనే ఇంకో పాత యంత్రం నాటి అలవాట్లతో రాసింది, దాని దారి వేరు. ఏది ఎక్కువుందో చూసి ఇక్కడ రాయండి, అప్పుడు పుస్తకాల పేర్లు చెబుతాను.

మరొకరి జవాబు

పై మాటతో నాకు పేచీ లేదు గానీ, ఒక సవరణ. భాష పుస్తకం కన్నా ముందు డేటాబేస్ సంగతి పట్టుకోండి. జావా నుంచి వచ్చినవాళ్లకి ఆర్‌పీజీ కష్టం కాదు, ఇఫ్‌లూ లూప్‌లూ ఎక్కడైనా ఒకటే. ఎక్కడ చిక్కుకుంటారంటే, ప్రోగ్రామ్‌లో ఎక్కడా డిక్లేర్ చేయని ఫీల్డులు ఎక్కడినుంచి వచ్చాయో తెలియక. అవి ఫైలు నిర్వచనంలోంచి కంపైల్ సమయంలో వాటంతటవే వచ్చేస్తాయి. ఫిజికల్ ఫైలు (అసలు డేటా ఉండేది), లాజికల్ ఫైలు (దాని మీద కట్టిన వేరే వరస), డీడీఎస్ (ఫైళ్లని నిర్వచించే భాష), డిస్‌ప్లే ఫైలు (తెర నిర్వచనం), ఈ నాలుగూ అర్థమైతే సగం కోడ్ తనంత తానే విడిపోతుంది. ఫైలులో ఒక ఫీల్డు మార్చి ప్రోగ్రామ్ మళ్లీ కంపైల్ చేయకపోతే వచ్చే లెవెల్ చెక్ తప్పు, సీపీఎఫ్4131, ఎందుకొస్తుందో కూడా అప్పుడే తెలుస్తుంది.

దీనికి పుస్తకం కొననక్కర్లేదు. ఐబీఎం డీడీఎస్ మాన్యువల్ పీడీఎఫ్ ఉచితం. డీఎస్‌పీఎఫ్ఎఫ్‌డీ కమాండ్ ఇచ్చి మీ ముఖ్యమైన ఫైళ్ల ఫీల్డులు చూసుకోండి. డీఎస్‌పీడీబీఆర్‌తో ఏ ఫిజికల్ ఫైలు మీద ఏ లాజికల్ ఫైళ్లు కట్టారో తెలుస్తుంది. డీఎస్‌పీపీజీఎంఆర్ఈఎఫ్‌తో ఏ ప్రోగ్రామ్ ఏ ఫైళ్లు తాకుతుందో వస్తుంది. ఈ మూడింటి అవుట్‌పుట్ దగ్గర పెట్టుకుని చదివితేనే ఏ పుస్తకమైనా ఉపయోగం.

ప్రశ్న అడిగినవారు

ఇద్దరికీ ధన్యవాదాలు. టైప్ కాలమ్ చూశాను. చాలావరకు ఆర్‌పీజీ అనే ఉంది. ఈమధ్య రాసినవి మాత్రం ఆర్‌పీజీఎల్ఈ, వాటిలో కొన్ని ఎస్‌క్యూఎల్‌వి.

ఊరికే ఒక పాత ప్రోగ్రామ్ తెరిచి చూస్తే ఒక లైను అస్సలు అర్థం కాలేదు. ఆరంకెల తేదీ ఫీల్డుని 10000.01తో గుణించి, జవాబుని మళ్లీ ఆరంకెల ఫీల్డులోనే పెడుతున్నారు. తేదీని గుణించడమేమిటండీ? కామెంట్ కూడా లేదు. ఇలాంటివి ఏ పుస్తకంలో ఉంటాయి?

మొదటి జవాబు రాసినవారు

మంచి లైనే పట్టుకున్నారు. దీన్ని విడదీస్తే పాత పుస్తకం ఎందుకు కావాలో దానంతటదే తెలుస్తుంది.

తేదీ నెల, రోజు, ఏడాది వరసలో ఉందనుకోండి. 2024 మార్చి 15 అంటే 031524. దాన్ని 10000.01తో గుణిస్తే 315240315.24 వస్తుంది. జవాబు పెట్టే ఫీల్డులో ఆరంకెలకే చోటు, దశాంశాలకి చోటే లేదు. కాబట్టి కుడివైపు .24 పోతుంది, ఎడమవైపు 315 కూడా పోతుంది. మిగిలింది 240315. అంటే ఏడాది, నెల, రోజు. ఇప్పుడు ఈ అంకెని సార్ట్ చేయొచ్చు, ఒకే శతాబ్దంలోని రెండు తేదీల్లో ఏది ముందో పోల్చొచ్చు. తేదీ అనే డేటా టైపే లేని రోజుల్లో ఒక్క లైనులో వరస తిప్పేసేవారు. తిరుగు దారికి 100.0001తో గుణిస్తారు. మీ కోడ్‌లో ఎక్కడో అదీ ఉంటుంది, వెతకండి.

ఇది నడవడానికి కారణం ఒక్క నియమం. మల్ట్ (గుణకారం) లాంటి పాత ఆపరేషన్లు జవాబు ఫీల్డులో పట్టకపోతే ఎడమవైపు అంకెల్ని చప్పుడు చేయకుండా కత్తిరించేస్తాయి. ఈ లైనుని ఎవరైనా కొత్త పద్ధతిలోకి మారుద్దామని ఎవాల్‌తో, అంటే ఎక్స్‌ప్రెషన్ విలువని ఫీల్డులో పెట్టే కొత్త ఆపరేషన్‌తో, రాశారనుకోండి, లెక్క అదే అయినా జవాబు పట్టలేదన్న తప్పుతో ప్రోగ్రామ్ ఆగిపోతుంది. ఎక్స్‌ప్రెషన్లలో కత్తిరింపు ఒప్పుకోరు. కొత్త పుస్తకం ఎవాల్ నేర్పుతుంది, మల్ట్ ఏం చేసేదో దాదాపుగా వదిలేస్తుంది. పాత రిఫరెన్స్ మాన్యువల్ రెండోది చెబుతుంది. రెండూ తెలిసినవాళ్లే ఈ లైను మీద చేయి వేయాలి.

ఒక ఫీల్డులోకి విలువని పెట్టే మూవ్ కూడా ఇలాంటిదే. అది జావాలోని అసైన్‌మెంట్ కాదు. ఫీల్డులో 12345 అనే అక్షరాలు ఉన్నప్పుడు 99ని మూవ్ చేస్తే 12399 అవుతుంది, మూవ్ఎల్ చేస్తే 99345 అవుతుంది. మిగతా అక్షరాలు అలాగే ఉండిపోతాయి. దీన్ని కావాలనే వాడుకున్న కోడ్ మీకు బోలెడు కనిపిస్తుంది.

ఇండికేటర్లు, అంటే ఆన్, ఆఫ్ అయ్యే నంబర్ల గుర్తులు, మూడోది. మూడో తరం కోడ్‌లో చైన్ (కీతో ఒక రికార్డుని వెతికే ఆపరేషన్) అన్న లైనులో 54, 55 కాలమ్‌లలో 90 అని కనిపిస్తే, రికార్డు దొరకనప్పుడు 90 నంబరు ఇండికేటర్ ఆన్ అవుతుందని అర్థం. కింది లైన్ల మొదట్లో ఎన్90 అని ఉంటే, దొరికితేనే ఆ లైను నడుస్తుంది. ఈ 90ని ప్రోగ్రామ్‌లో ఇంకెక్కడైనా వాడారేమో చూడకుండా దేన్నీ మార్చకండి. నాలుగో తరంలో ఇవే ఇండికేటర్లు 71 నుంచి 76 కాలమ్‌లకి జరిగాయి, కాబట్టి చేతిలో ఉన్న పుస్తకం ఏ తరానిదో తెలియకుండా కాలమ్ లెక్కపెడితే తప్పు లెక్కే వస్తుంది. చైన్ చేయగానే దొరికిందా లేదా అని నేరుగా అడిగే ఫౌండ్ ఫంక్షన్ తర్వాత వచ్చిన సుఖం.

ఇక పుస్తకాలు. జూడీ యేగర్ రాసిన 'ప్రోగ్రామింగ్ ఇన్ ఆర్‌పీజీ/400' మీకు మొదటిది. పాఠ్యపుస్తకంలా మెల్లగా చెబుతుంది, చివర అభ్యాసాలుంటాయి. ఆమెదే 'ప్రోగ్రామింగ్ ఇన్ ఆర్‌పీజీ ఫోర్' రెండోది. దాన్నే తర్వాతి కూర్పుల్లో బ్రయన్ మేయర్స్, జిమ్ బక్ సవరిస్తూ వచ్చారు, చివరికి 'ప్రోగ్రామింగ్ ఇన్ ఐఎల్ఈ ఆర్‌పీజీ' అన్న పేరుతో ఫ్రీ ఫార్మాట్‌ని నేర్పే పుస్తకం అయింది. మీ ఆర్‌పీజీఎల్ఈ మెంబర్లకి ఈ చివరిది కావాలి. ఈ వరసలో పాత కూర్పు కొనేటప్పుడు లోపలి పేజీ ఒకటి చూడండి. కాలమ్ గీతలతో ఉంటే ఒక తరం, సెమికోలన్లతో ఉంటే ఇంకో తరం.

ఐబీఎం మాన్యువల్స్ పక్కన ఉండాల్సిందే. 'ఐఎల్ఈ ఆర్‌పీజీ రిఫరెన్స్' వెతుక్కోవడానికి, 'ఐఎల్ఈ ఆర్‌పీజీ ప్రోగ్రామర్స్ గైడ్' చదవడానికి. రిఫరెన్స్‌ని మొదటి పేజీ నుంచి చదవబోయి విసిగిపోయినవాళ్లు చాలామంది. దాన్ని నిఘంటువులాగే వాడాలి.

వేరొకరి ప్రశ్న

మధ్యలో అడుగుతున్నందుకు ఏమనుకోకండి అన్నా. మా దగ్గర మెయిన్‌ఫ్రేమ్, కోబాల్. నాకూ ఇదే వరస పనికొస్తుందా?

జవాబు

వరస వేరు తమ్ముడూ. కోబాల్ భాషగా తేలికే, ఇంగ్లిష్ వాక్యాల్లా చదువుకుపోవచ్చు. మెయిన్‌ఫ్రేమ్‌లో ముందు అడ్డుపడేది జేసీఎల్, అంటే జాబ్ ఎలా నడవాలో చెప్పే భాష. అందుకని ఐబీఎం రెడ్‌బుక్ 'ఇంట్రడక్షన్ టు ద న్యూ మెయిన్‌ఫ్రేమ్: జెడ్/ఓఎస్ బేసిక్స్' ముందు చదువు, ఉచితంగా దొరుకుతుంది. డేటాసెట్ అంటే ఏమిటి, జాబ్ ఎలా వెళ్తుంది, అవుట్‌పుట్ ఎక్కడ చూడాలి, అన్నీ మొదటినుంచి ఉంటాయి. తర్వాత 'మురాక్స్ మెయిన్‌ఫ్రేమ్ కోబాల్'. 2004లో వచ్చింది, అయినా ఇవాళ్టి పనికి సరిపోతుంది. భాష, జేసీఎల్, వీశామ్ అనే పద్ధతిలోని ఫైళ్లు, లావాదేవీలు నడిపే సిక్స్ పరిచయం ఒకేచోట ఉన్నాయి.

ఒక్కటి మాత్రం బాగా నేర్చుకో, కాంప్-3, అంటే అంకెల్ని కుదించి దాచే పద్ధతి. తొమ్మిదంకెల సంఖ్య ఐదు బైట్లలో ఎలా సర్దుకుంటుందో, చివరి అర బైట్‌లో ప్లస్, మైనస్ గుర్తు ఎక్కడుంటుందో హెక్స్‌లో చూసి పోల్చుకోవడం రావాలి. అంకెలుండాల్సిన చోట ఖాళీలు పడితే హెక్స్‌లో 40 అని కనిపిస్తుంది. ఎస్ఓసీ7 అనే డేటా తప్పుతో జాబ్ పడిపోయినప్పుడు మొదట వెతకాల్సింది అలాంటి చెత్తనే. ఇంట్లో భాష అభ్యాసానికి గ్నూకోబాల్ అనే కంపైలర్ చాలు, అయితే జేసీఎల్, సిక్స్ దానితో రావు.

ప్రశ్న అడిగినవారు

గుణకారం లెక్క కాగితం మీద వేసి చూశాను, ఇంకో తేదీకీ సరిగ్గా వచ్చింది. 100.0001 కూడా వేరే ప్రోగ్రామ్‌లో దొరికింది! ఆర్‌పీజీ/400 పాఠ్యపుస్తకం సెకండ్ హ్యాండ్‌లో ఆర్డర్ పెట్టాను. ఇంకో సందేహం. అభ్యాసాలు చేయడానికి ఆఫీసు సిస్టమ్ మీద ప్రయోగాలు చేయనివ్వరు. ఇంట్లో ల్యాప్‌టాప్‌లో ఏమైనా వేసుకోవచ్చా?

డేటాబేస్ గురించి రాసినవారు

ల్యాప్‌టాప్‌లో ఐబీఎం ఐ వేసుకోవడం కుదరదండీ. పబ్400 అని నేర్చుకునేవాళ్ల కోసం ఉచితంగా నడిపే సర్వర్ ఒకటుంది, అందులో ఖాతా తీసుకోండి. 5250 ఎమ్యులేటర్ (ఈ యంత్రాల టెర్మినల్‌లా పనిచేసే ప్రోగ్రామ్) ఒకటి వేసుకుంటే పచ్చ తెర అచ్చం ఆఫీసులోలాగే వస్తుంది. ఆఫీసు సోర్స్ మాత్రం అక్కడికి ఎక్కించకండి, పుస్తకంలోని అభ్యాసాలే చేయండి.

ఎడిటర్ విషయంలో జాగ్రత్త. ఎస్ఈయూ అనే పాత ఎడిటర్‌లో తప్పుల తనిఖీ 6.1 రిలీజ్ దగ్గరే ఆగిపోయింది. కొత్త పుస్తకంలోని ఫ్రీ ఫార్మాట్ డిక్లరేషన్లు అందులో కొడితే అన్నీ తప్పులంటుంది, కంపైలర్ మాత్రం ఒప్పుకుంటుంది. ఆ అభ్యాసాలకి వీఎస్ కోడ్, దాని మీద కోడ్ ఫర్ ఐబీఎం ఐ ఎక్స్‌టెన్షన్ వేసుకోండి. మూడో తరం కోడ్‌కి ఎస్ఈయూనే హాయి, ఎఫ్4 నొక్కితే లైనుని కాలమ్‌ల వారీగా విడదీసి చూపిస్తుంది.

మొదటి జవాబు రాసినవారు

ఒక అభ్యాసం నేనూ చెబుతాను. పుస్తకంలో మొదటి ఫైలు ప్రోగ్రామ్ చేశాక మీ ఆఫీసు కోడ్‌లో ఎఫ్ స్పెక్ లైన్లు, అంటే వాడే ఫైళ్లని ప్రకటించే లైన్లు, చూడండి. మూడో తరంలో 16వ కాలమ్‌లో పి ఉంటే ఆ ప్రోగ్రామ్ సైకిల్ మీద, అంటే ఆర్‌పీజీ తానే తిప్పే లూప్ మీద, నడుస్తోంది. రీడ్ అన్న మాట ఎక్కడా కనిపించకపోయినా రికార్డులు ఒక్కొక్కటే వచ్చి పడుతుంటాయి, ఫైలు అయిపోగానే ఎల్ఆర్ (చివరి రికార్డు ఇండికేటర్) దానంతటదే ఆన్ అవుతుంది. అదే కాలమ్‌లో ఎఫ్ ఉంటే చదవడం, ఆపడం అన్నీ ప్రోగ్రామరే రాశారు. పి ఉన్న ప్రోగ్రాములు ఏవో విడిగా ఒక జాబితా రాసుకోండి.

ఆ జాబితా తీసుకుని మీ దగ్గరున్న పెద్దాయన పక్కన కూర్చోండి. ఏ ప్రోగ్రామ్ నెలాఖరు రన్‌లో వస్తుంది, ఏది మధ్యలో ఆగితే మొదటినుంచి మళ్లీ నడపొచ్చు, ఏది నడపకూడదు, ఈ మూడూ ఆయన్ని అడిగి ప్రతి పేరు పక్కనా రాసి పెట్టుకోండి. ఇవి ఏ పుస్తకంలోనూ ఉండవు, ఆయన ఉండగానే అడగాలి.