30 లక్షల హోమ్ లోన్, 25 ఏళ్లు పెట్టుకోమంటున్నారు: చివరికి ఇల్లు ఎంతకు పడుద్ది?

చీమకుర్తి_పద్దులు (ఒంగోలు)

అందరికీ నమస్కారం. చీమకుర్తిలో ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో అకౌంట్స్ చూస్తా. ఉండేది ఒంగోలు భాగ్యనగర్‌లో, అద్దె 11 వేలు. మంగమూరు రోడ్డు వైపు డబుల్ బెడ్‌రూమ్ ఇల్లు ఒకటి 42 లక్షలకు మాట అయింది. చేతిలో 15 లక్షలు ఉన్నాయి, అందులో నాలుగు మా ఆవిడ చీటీ పాడిన డబ్బులు. అందులో 12 ఇంటికి పెట్టి, మిగతా 30 లక్షలకు లోన్ చూస్తున్నా. వయసు 36, ప్రైవేటు ఉద్యోగం, పెన్షన్ లాంటిదేమీ లేదు.

హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ అబ్బాయి ఇంటికే వచ్చాడు. 8.5 శాతం ఫ్లోటింగ్ (అంటే మధ్యలో రేటు మారొచ్చు), 25 ఏళ్లు, ఈఎంఐ 24,157. "20 ఏళ్లు పెడితే 26 వేలు దాటిద్ది సార్, 25 పెట్టుకుంటే నెలనెలా సుఖంగా ఉంటది" అంటున్నాడు. దాంతో పాటు లోన్‌కి ఇన్సూరెన్స్ అని 1,10,000. అది కూడా లోన్‌లోనే కలిపేస్తాడంట, చేతి నుంచి రూపాయి తియ్యక్కర్లేదంట.

మా నాన్న పొదిలి దగ్గర పొగాకు రైతు. ఆయన లెక్క ఆయనది. "ఎనిమిదిన్నర అంటే నూటికి నెలకు డెబ్భై పైసలు. నేను రెండు రూపాయల వడ్డీకి తెచ్చి పొగాకు ఎండబెట్టే బ్యారన్ కట్టా. డెబ్భై పైసలకు ఎవడిస్తాడ్రా ఈ రోజుల్లో, కళ్లు మూసుకుని తీసుకో" అంటాడు.

మొత్తం ఎంత కడతానో చెప్పవయ్యా అని అడిగితే ఆ అబ్బాయి ఫోన్ తిప్పి మళ్లీ ఈఎంఐనే చూపిస్తున్నాడు. లోన్ తీసుకున్నవాళ్లు, బ్యాంకుల్లో చేసినవాళ్లు ఎవరన్నా ఉంటే అసలు సంగతి చెప్పండి.

సంతపేట_కుర్రోడు

72 లక్షలు అన్నా. 42 లక్షల ఇంటికి లోన్ ఒక్కదానికే 72. ఇంక మీ 15 వేరే.

కావలి_లోన్ల_సెక్షన్

ఆ కుర్రోడు చెప్పింది కరెక్టే. 24,157 ఇంటూ 300 నెలలు, 72 లక్షల 47 వేలు. అంటే వడ్డీ 42 లక్షల 47 వేలు. ఇల్లెంతో వడ్డీ అంత.

నేను రిటైరయి నాలుగేళ్లయింది. అంతకు ముందు చాలాకాలం ఇంటి లోన్ల బల్ల దగ్గరే కూర్చున్నా. ఫైలు దొంతర ముందు పెడతాం, సంతకం పెట్టాల్సిన చోటల్లా పెన్సిల్‌తో ఇంటూ మార్కు గీసి ఉంచుతాం. వచ్చినాయన "ఈఎంఐ ఎంత సార్" అని ఒక్క మాట అడిగి, వరసబెట్టి సంతకాలు చేసుకుంటా పోతాడు. చివరి పేజీల్లో నెలవారీ పట్టిక ఉంటుంది. దాన్ని తిప్పి చూసినవాళ్లు నాకు తెలిసి బహు తక్కువ. అందుకే మీరు ఈ ప్రశ్న అడగడం చూసి సంతోషమేసింది.

మీ నాయన చెప్పిన డెబ్భై పైసల లెక్కలో తప్పు లేదు. సరిగ్గా చెప్పాలంటే 71 పైసలు. కానీ ఊళ్లో ప్రోనోటు మీద తెచ్చిన బాకీకీ దీనికీ తేడా వడ్డీ రేటులో లేదు, కాలంలో ఉంది. ఆయన రెండు రూపాయలకు తెచ్చినా, పొగాకు వేలంలో అమ్ముడుపోగానే అసలూ వడ్డీ ఒక్కసారి పడేసి నోటు చించేసుంటాడు. ఏడాది, మహా అయితే రెండేళ్లు. ఇక్కడ రేటు తక్కువే, కానీ అసలు సొమ్ము కదలదు. చూడండి.

మీ మొదటి నెల వడ్డీ 21,250. మీరు కట్టేది 24,157. అసలుకు పోయేది 2,907, అంతే. ఐదేళ్లు తప్పకుండా కట్టారనుకుందాం, 14 లక్షల 49 వేలు అవుద్ది. అప్పుడు బాకీ ఎంతుంటుందో చెప్పమంటారా? 27 లక్షల 83 వేలు. 25 ఏళ్ల లోన్‌లో నెలనెలా కట్టేదాంట్లో వడ్డీ కన్నా అసలు ఎక్కువయ్యేది 17వ ఏట. అప్పటికి మీకు 53.

అదే 20 ఏళ్లు పెట్టుకుంటే ఈఎంఐ 26,035, మొత్తం 62 లక్షల 48 వేలు. నెలకు 1,878 రూపాయలు తగ్గించుకోడానికి పది లక్షలు ఎక్కువ కడతా ఉండారు. 15 ఏళ్లయితే 29,542, మొత్తం 53 లక్షల 18 వేలు. మీ జీతం నాకు తెలియదు కాబట్టి 15 పెట్టుకోమని చెప్పలేను. 25 మాత్రం వద్దు. 61 ఏళ్ల దాకా ఈఎంఐ, పెన్షన్ లేని ఉద్యోగం, మంచిది కాదు.

ఇన్సూరెన్స్ గురించి. ఆ 1,10,000 "చేతి నుంచి పెట్టక్కర్లేదు" అన్నాడు చూడండి, దాన్ని లోన్‌లో కలిపితే 20 ఏళ్లలో 2 లక్షల 29 వేలు అవుద్ది. ఇంటి లోన్‌కి జీవిత బీమా కట్టి తీరాలని చట్టంలో ఎక్కడా లేదు. బీమా వద్దని చెప్పను, మీకు పిల్లలుంటే కచ్చితంగా ఉండాలి. ఏడాదికోసారి ప్రీమియం కట్టే టర్మ్ పాలసీ బయట విడిగా తీసుకోండి. మొదటి లోన్ మీద రెండో లోన్ ఎక్కించుకోవడం ఎందుకు?

ఇంకోటి, అన్నిటికన్నా ముఖ్యం. ఆ 8.5 దేనికి కట్టి ఉంది? 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ ఇంటి లోన్లన్నీ రెపో (రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) లాంటి బయటి రేటుకు కట్టి ఉండాలని రిజర్వ్ బ్యాంకు నియమం పెట్టింది. అది బ్యాంకులకు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలు ఎక్కువగా తమ సొంత పీఎల్ఆర్‌కి, అంటే తామే నిర్ణయించుకునే మూల రేటుకి, కట్టుకుంటాయి. పెరిగేటప్పుడు చకచకా పెరిగి, తగ్గేటప్పుడు నిదానంగా తగ్గుతుందని జనం గోల పెట్టేది అక్కడే. 2025లో ఫిబ్రవరి నుంచి డిసెంబర్ దాకా నాలుగు విడతల్లో రెపో 6.50 నుంచి 5.25కి దిగింది. ఆ తగ్గుదలలో పాత ఖాతాదారులకు ఎంత ఇచ్చారో ఆ అబ్బాయిని అడగండి. ముఖం చూస్తే చాలు, జవాబు తెలిసిపోద్ది.

కందుకూరు_టీచరమ్మ

కావలి సార్ రేటు సంగతి ఎత్తారు కాబట్టి నాది చెప్తాను. ఈ భాగం కాగితం మీద కనపడదు.

2021 మార్చిలో 22 లక్షలు తీసుకున్నాం. బ్యాంకే, పేరు అనవసరం. 6.7 శాతం, 20 ఏళ్లు, ఈఎంఐ 16,663. అప్పుడు రెపో 4. 2022 మే నుంచి మొదలుపెట్టి 2023 ఫిబ్రవరికి 6.5 చేశారు. మా రేటు 9.2 అయింది. మాకేమన్నా తెలిసిందా? ఈఎంఐ మారలేదు. ప్రతి నెలా ఐదో తారీకున అదే 16,663 కట్ అవుతోంది, అంతా సవ్యంగానే ఉందనుకుంటాం కదా.

ట్యాక్స్ కోసం వడ్డీ సర్టిఫికెట్ తీసుకుని, మా స్కూల్ స్టాఫ్ రూమ్‌లో స్టేట్‌మెంట్ పక్కన పెట్టుకుని చూస్తున్నా. ఏప్రిల్ వరసలో వడ్డీ గడి 16 వేల పైన, అసలు గడిలో 500 కూడా లేదు. రెండేళ్లకు ముందు అదే గడిలో 4,380 ఉంది. ఎక్సెల్‌లో వేసి చూశాను. అదే రేటు, అదే ఈఎంఐ సాగితే ఇంకా 38 ఏళ్లు. నాకప్పుడు 41. 79 ఏళ్ల దాకా అన్నమాట. మాకు రిటైర్‌మెంట్ 62.

బ్రాంచికి వెళ్తే "మీకు భారం కాకూడదని ఈఎంఐ పెంచలేదు మేడమ్" అన్నారు! ఆ ఆగస్టులోనే (2023 ఆగస్టు 18) రిజర్వ్ బ్యాంకు సర్క్యులర్ వచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, కాలం పొడిగించాలా, రెండూ కొంత కొంతా, లేక కొంత అసలు కట్టెయ్యాలా అనేది లోన్ తీసుకున్నవాళ్లను అడగాలి. కాలం, ఈఎంఐ ఎలా మారుతున్నాయో చెప్పాలి. అది పట్టుకెళ్లి అర్జీ రాసిచ్చాను, మొదట అనుకున్న కాలానికే ఉంచండి, ఈఎంఐ పెంచండి అని. 20 వేల పైన పడింది. 2025లో రేట్లు తగ్గినప్పుడు మళ్లీ అడిగారు, ఈఎంఐ తగ్గించమంటారా అని. వద్దన్నాను. అదే కడుతున్నా, కాలం తరుగుతోంది.

ఈఎంఐ మారలేదంటే లోన్ మారలేదని కాదు. ఆరు నెలలకోసారి యాప్‌లో మిగిలిన నెలలు ఎన్ని అని చూసుకోండి తమ్ముడూ.

వేదాయపాళెం_వాసి (నెల్లూరు)

అందరూ కలిసి ఆయన్ని భయపెట్టేస్తుండారు. 62 లక్షలు అంటే ఇయ్యాళ్టి 62 లక్షలు కాదు గదబ్బా. ధరలు ఏడాదికి 5 శాతం పెరుగుతాయనుకుంటే, 20 ఏళ్ల తర్వాత కట్టే 26 వేలు ఇప్పటి 10 వేలతో సమానం. జీతం పెరుగుద్ది, రేటు పెరిగితే తప్ప ఈఎంఐ పెరగదు. ఇంకో పక్క ఆయన అద్దె 11 వేలు. అది కూడా ఏడాదికి 5 శాతం పెరిగితే 20 ఏళ్లలో 43 లక్షల పైన ఇంటాయన చేతిలో పోసి ఉత్త చేతుల్తో బయటికి రావాల. దాన్ని ఎవరూ లెక్కెయ్యరేంది?

కావలి_లోన్ల_సెక్షన్

వేదాయపాళెం ఆయన మాటలో న్యాయం ఉంది, ఒప్పుకుంటా. ఇల్లు కొనొద్దని నేను చెప్పలా. కానీ అద్దెకు ఉన్నాయన స్లాబు కారితే ఇంటాయనకు ఫోన్ చేస్తాడు. సొంతాయన మేస్త్రికి చేస్తాడు. ఇంటి పన్ను, బోరు మోటారు, పదేళ్లకోసారి రంగులు, ఇవన్నీ మనవే. ఇప్పటికిప్పుడు అద్దెకీ ఈఎంఐకీ తేడా 15 వేలు. అది పక్కన పడుతుందా, ఖర్చయిపోతుందా అనేది మనిషిని బట్టి. మా దగ్గర కూడబెట్టినవాళ్లు తక్కువే.

రిజిస్ట్రేషన్ కూడా మర్చిపోవద్దు. మన రాష్ట్రంలో స్టాంపు డ్యూటీ 5, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 1, మొత్తం ఏడున్నర శాతం. 42 లక్షల మీద 3 లక్షల 15 వేలు. దానికి లోన్ రాదు. లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, ప్రాసెసింగ్ ఫీజు, తనఖా రిజిస్ట్రేషన్ విడి. మీ 15 లక్షల్లో ఇల్లు పోగా మిగిలేది మూడే, జాగ్రత్త.

ట్యాక్స్ మిగులుతుందని ఆ అబ్బాయి చెప్పుంటాడు. సొంతానికి ఉండే ఇంటి మీద వడ్డీకి 2 లక్షల మినహాయింపు ఆదాయపు పన్ను పాత పద్ధతిలోనే. కొత్త పద్ధతిలో ఉంటే సున్నా.

చీమకుర్తి_పద్దులు

అందరికీ థాంక్సండి. టీచరమ్మ గారు చెప్పిన 38 ఏళ్లు నేనూ ఎక్సెల్‌లో వేసి చూశా, నిజంగానే వస్తోంది. రాత్రి మా నాన్నకు ఐదేళ్ల బాకీ లెక్క చెప్పా. కాసేపు మాట్లాడలా. తర్వాత "అయితే పైరు డబ్బులొచ్చినప్పుడల్లా అసలులో కడితే తీసుకుంటారా?" అని అడిగాడు. తీసుకుంటారా సార్? జరిమానా ఏమన్నా ఉంటదా? ఈ ఏడు పొగాకు మీద లక్ష దాకా ఇస్తానంటున్నాడు.

కావలి_లోన్ల_సెక్షన్

మీ నాయన సరైన ప్రశ్న అడిగాడు. ప్రోనోటు పద్ధతిని ఇందులోకి తేవడమంటే అదే.

వ్యక్తుల పేరు మీద ఉన్న ఫ్లోటింగ్ ఇంటి లోన్‌కి ముందు కట్టినందుకు జరిమానా వెయ్యకూడదు, బ్యాంకయినా ఫైనాన్స్ కంపెనీ అయినా. 20 ఏళ్ల లోన్‌లో మొదటి ఏడాది చివర లక్ష కడితే, ఈఎంఐ మార్చకుండా ఉంచితే, చివర్లో 18 ఈఎంఐలు ఎగిరిపోతాయి. 4 లక్షల 70 వేలు. అదే లక్ష 15వ ఏడాది చివర కడితే ఆరు ఈఎంఐలు కూడా పోవు. అందుకని కట్టేదేదో ముందు ఏళ్లలోనే కట్టండి. లక్ష లేకపోయినా ఏటా ఒక్క ఈఎంఐ అదనంగా వేస్తే 16 ఏళ్ల 8 నెలలకు తీరిపోద్ది, ఆరు లక్షల పైన మిగులుద్ది.

ఒక్క విషయం. కట్టిన రోజున "ఈఎంఐ ఇట్టే ఉంచండి, కాలం తగ్గించండి" అని కాగితం మీద రాసిచ్చి, రెండో కాపీ మీద ముద్ర వేయించుకోండి. నోటితో చెప్తే కౌంటర్‌లో ఎవరుంటే వాళ్లకు తోచినట్టు చేస్తారు. ఈఎంఐ తగ్గించేశారంటే మీ లక్షకు సగం ఫలితం కూడా రాదు.

సంతకాలకు ముందు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అడగండి. 2024 అక్టోబర్ నుంచి ఇవ్వడం తప్పనిసరి. అన్ని ఖర్చులూ కలిపిన ఏడాది శాతం, ఈఎంఐల పట్టిక అందులో ఉంటాయి. అందులో లేని చార్జీ మీరు ఒప్పుకోకుండా తర్వాత వెయ్యకూడదు. ఒక ప్రభుత్వ బ్యాంకు నుంచి కూడా అదే కాగితం తెచ్చుకుని రెండూ పక్కపక్కన పెట్టండి.

చీమకుర్తి_పద్దులు

సోమవారం సెలవు పెట్టా సార్. బ్యాంకుకి ముందు పోతా, ఆ అబ్బాయి దగ్గరికి తర్వాత. 20 ఏళ్లకు, ఇన్సూరెన్స్ లేకుండా, రెండు చోట్లా కాగితం అడుగుతా. వచ్చాక అంకెలు ఇక్కడే పెడతా. నాన్న ఇచ్చే లక్ష మొదట్లోనే పెట్టి 29 లక్షలే తీసుకుంటే మేలా, తీసుకున్నాక కట్టాలా?

కావలి_లోన్ల_సెక్షన్

లెక్క ప్రకారం మొదట్లోనే తగ్గించుకోవడం మేలు. కానీ రిజిస్ట్రేషన్ అయ్యాక మీ చేతిలో ఏమీ మిగిలేట్టు లేదు. ఆ లక్షను ఫిక్స్‌డ్‌లో వేసి దాదాపు నాలుగు ఈఎంఐలకు అడ్డం పెట్టుకోండి. మీ గ్రానైట్‌కి ఎగుమతి ఆర్డర్లు తగ్గిన నెల అది కావాలి. వచ్చే ఏటి పొగాకు నుంచి అసలులో కట్టడం మొదలుపెట్టండి.