సమస్యాపూరణం: 'దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె'

కవిమిత్రులారా, ఈసారి సమస్య, అంటే మీరు చివరి పాదంగా పెట్టి పద్యంలో అర్థవంతం చేయవలసిన వింత మాట, తేటగీతి అనే ఛందస్సులో ఒక పాదం.

దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

సందర్భం కల్పిత లోకానిది. అక్కడ 'నిశాసూత్రాలు' అనే ప్రాచీన దర్శనగ్రంథం ఉంది. కర్త ఎవరో ఎవరికీ తెలియదు. తాళపత్రాలు లేవు, గ్రంథమంతా ఒక గుహ గోడ మీదే ఉంది. ఆ గుహ రాయికి ఒక గుణం: మీద పడిన వెలుగును పట్టి ఉంచుకుని, చీకటి పడ్డాక విడుస్తుంది. గ్రంథంలో మొదటి సూత్రం 'చూపునదే దాఁచును'. ఇంతకు మించి ఆ లోకం గురించి నేనేమీ చెప్పను. మిగిలింది మీ ఊహ.

మొదటి పూరణ

నేను నేనను గర్వమే నిండు దివ్వె
వెలుఁగునంతసే పర్థమ్ము వెలితియయ్యె
గురువు మాటను విని యహంకార మనెడి
దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

నిర్వాహకుడు: భావం చక్కగా ఉంది. మూడో పాదంలో యతి, అంటే పాదం మొదటి అక్షరానికి నడుమ నిర్ణీత స్థానంలోని అక్షరంతో ఉండవలసిన పొంతన, తప్పింది. 'గు'కు 'కా'తో హల్లు కుదిరినా అచ్చు కుదరదు. 'గాఢమౌ బోధ విని యహంకార మనెడి' అంటే సరిపోతుంది. అయితే అహంకారాన్ని దీపం చేయడం ఏ లోకానికైనా, ఏ గ్రంథానికైనా అతుకుతుంది. గుహ ఏది, రాయి ఏది? సందర్భం ఇచ్చింది అందుకే కదా.

రెండవ పూరణ

కనుల కందని గీతలు గలవు గోడ
పైన, వ్రేళ్ళతోఁ దడిమెడు వారి కెల్ల
చూపు చెదరక చిత్తమ్ము చొచ్చుకొఱకు
దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

ఒక సభ్యుడు: వేళ్ళతో చదివేవాడికి దీపం ఉంటేనేం, లేకపోతేనేం? ఆర్పవలసిన పని ఏముంది?

పూరణకర్త: ఆర్యా, మూడో పాదం దానికోసమే రాశాను. కన్ను తెరిచి ఉంటే మనసు వేలికొసకు దిగదు.

నిర్వాహకుడు: ఆ సమాధానం పద్యంలోనే ఉంది కాబట్టి ఒప్పుకుంటున్నాను. గణాలూ (లఘుగురువుల కూర్పులూ) యతులూ సరిగానే ఉన్నాయి. రాతి గుణాన్ని మాత్రం వాడుకోలేదు.

మూడవ పూరణ

మంత్ర మొక్కటి పఠియింప మాయ గుహను
వింతలెన్నియొ పుట్టెను, వేయు నేల
రాయి మాటాడె; నింగియు రాలిపడియె
దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

నిర్వాహకుడు: ఛందస్సులో వేలు పెట్టడానికి లేదు. ధార కూడా బాగుంది. కానీ సమస్య అలాగే ఉండిపోయింది. చతుష్షష్టి కళల్లో సమస్యాపూరణాన్ని ఒకటిగా లెక్కించారంటే, అసంబద్ధంగా కనిపించే మాటను సంబద్ధం చేసే నేర్పు అందులో ఉంది కనుకనే. రాయి మాట్లాడి, నింగి రాలిపడే చోట దీపం ఆర్పితే గ్రంథం తెలియడం వింతే కాదు. దీపం వెలిగించినా తెలుస్తుంది, గుహ వదిలి వెళ్ళిపోయినా తెలుస్తుంది. ఏదైనా జరగగలిగిన చోట సమస్యకు తావెక్కడ? కల్పిత లోకమైతే కట్టుబాటు ఇంకా గట్టిగా ఉండాలని నా నమ్మకం. ఆ లోకపు నియమం మీద మీ పద్యం నిలబడాలి. ధార ఉన్న కవి కాబట్టి మరొక పూరణ అడుగుతున్నాను.

నాలుగవ పూరణ

పగలు కనరాని లిపులవి, పసిఁడి దివ్వె
కాంతి నంతయుఁ దమలోనఁ గలుపుకొనియె
తిరిగి యిచ్చును జీఁకటిన్, దీని నెఱిఁగి
దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

నిర్వాహకుడు: చాలా సంతోషం కలిగింది. సమస్యలో 'ఆర్పిన' అన్న మాటకు ఇంతవరకు ఎవరూ పట్టించుకోని బలం ఇక్కడ వచ్చింది. ఆర్పాలంటే ముందు వెలిగించాలి. గుహలో మొదటినుంచీ చీకటే ఉంటే ఈ లిపి ఎప్పటికీ కనబడదు. చీకట్లో కనిపించే గడియారపు ముళ్ళు చూడండి. పాత రేడియం ముళ్ళు తమంతట తామే వెలిగేవి, వాటికి ఏ దీపమూ అక్కరలేదు. ఇప్పుడు వాడే స్ట్రాన్షియం అల్యూమినేట్ పూత అలా కాదు, వెలుతురు తగిలితేనే తరువాత చీకట్లో వెలుగుతుంది. ఈ గుహ రాయి రెండో రకం. కవి ఆ తేడాను పట్టుకున్నారు.

'లిపులవి'లో 'అవి' పాదపూరణకే వచ్చింది. పైగా అక్కడ వాక్యం తెగిపోయింది. 'పగలు కనరాని యక్షరాల్ పసిఁడి దివ్వె' అంటే మొదటి రెండు పాదాలూ ఒకే వాక్యంగా సాగుతాయి.

పూరణకర్త: సవరణకు ధన్యవాదాలు. అలాగే మార్చుకుంటాను.

మూడవ పూరణకర్త మరొక ప్రయత్నం

నీడలే యక్షరములుగా నిలిచి మనల
మభ్యపెట్టెను దీపమ్ము మండునపుడు
శిలలు దాఁచిన నిజమైన చిన్నెలఁ గన
దీపమార్పిన గ్రంథమ్ము దెలియవచ్చె

నిర్వాహకుడు: అద్భుతం! ఎగుడుదిగుడు గోడ మీద దీపపు నీడలు లేని అక్షరాలను పుట్టిస్తాయన్న ఊహ నాకు తట్టలేదు. 'చూపునదే దాఁచును' అన్న సూత్రం పద్యంలో ఎక్కడా లేదు, కానీ పద్యమంతా దాని వ్యాఖ్యానమే. మూడో పాదంలో 'శి'కి 'చి' యతిమైత్రి చెల్లుతుంది, సందేహం అక్కరలేదు.

ఒక సభ్యుడు: నాలుగవ పూరణలో దీపం అక్షరాలకు వెలుగునిచ్చింది. ఇక్కడ అదే దీపం మోసం చేసింది. ఏది గ్రంథానికి దగ్గర?

నిర్వాహకుడు: నాలుగవది గుహకు దగ్గర, ఇది సూత్రానికి దగ్గర. ఒకటే ఎంచుకోమంటే దీనికే ఓటు వేస్తాను. ఇందులో దీపం ఆర్పకపోతే అక్షరాలు కనబడకపోవడమే కాదు, తప్పుడు అక్షరాలను గ్రంథమనుకుని వెళ్ళిపోతాం. 'మండునపుడు' బదులు మరింత మెత్తని మాట దొరుకుతుందేమో కవిగారు చూడాలి. దివ్వె గుహలో ఊగుతుంటేనే నీడలు కదులుతాయి, ఆ కదలిక రెండో పాదంలో ఇంకా రాలేదు.